ఇసుక బొరియ చరిత్ర: గోఫర్ తాబేలు

అమెరికా ఆగ్నేయ మూలన, దక్షిణ కరోలినా కింది కొస నుంచి జార్జియా, ఫ్లోరిడా, అలబామా, మిసిసిపీల మీదుగా లూసియానా తూర్పు అంచు దాకా ఉన్న ఇసుక నేలల్లో గోఫర్ తాబేలు బతుకుతుంది. మిసిసిపీ నదికి తూర్పున పుట్టి పెరిగే మెట్ట తాబేలు ఇదొక్కటే. పెద్దదాని డిప్ప సాధారణంగా అడుగు లోపే ఉంటుంది. ముందుకాళ్లు పారల్లా వెడల్పుగా, వెనకకాళ్లు ఏనుగు పాదాల్లా మొద్దుగా ఉంటాయి. ముందుకాళ్లతో ఇసుక తవ్వుకుంటూ బొరియ చేసుకుని, జీవితంలో ఎక్కువ భాగం అందులోనే గడుపుతుంది.

బొరియ నోరు అర్ధచంద్రాకారంలో ఉంటుంది. కింద చదును, పైన కమాను. తాబేలును ఎదురుగా చూస్తే కనిపించే ఆకారం సరిగ్గా అదే. సొరంగం వెడల్పు తాబేలు పొడవుకు తగ్గట్టు ఉంటుంది కాబట్టి అది లోపల ఎక్కడైనా వెనక్కి తిరగగలదు. అలవాటైనవాళ్లు నోటి వెడల్పు చూసి లోపల ఉన్నది పిల్లో పెద్దదో చెప్పేస్తారు. సగటున 15 అడుగుల పొడవు, ఆరు అడుగులకు పైగా లోతు ఉండే ఈ బొరియలు ఒక్కోసారి 48 అడుగుల దాకా సాగుతాయి. లోపల ఎండాకాలం చల్లగా, చలికాలం వెచ్చగా ఉంటుంది. తవ్విన ఇసుక గుమ్మం ముందు అరుగులా పేరుకుంటుంది. మే, జూన్ నెలల్లో ఆడ తాబేలు చాలాసార్లు ఆ అరుగులోనే ఆరేడు గుడ్లు పెడుతుంది, అదీ ఏడాదికి ఒక్కసారే. అవి పిల్లలవడానికి సుమారు మూడు నెలలు పడుతుంది. ఆలోపు రకూన్లు, నక్కలు, ఆర్మడిల్లోలు చాలావాటిని తవ్వి తినేస్తాయి. బతికిన పిల్ల గుడ్డు పెట్టే ఈడుకు రావడానికి పది నుంచి ఇరవై ఏళ్లు పడుతుంది. ఇంత నిదానంగా సంతతి పెరిగే జీవి ఒకసారి తగ్గితే మళ్లీ కోలుకోవడం ఎంత కష్టమో ఈ లెక్కే చెబుతుంది.

ఆ బొరియలో తాబేలు ఒంటరిగా ఉండదు. ఇండిగో పాము, గోఫర్ కప్ప, ఫ్లోరిడా ఎలుక, తేళ్లు, పేడపురుగులు కలిపి 350కి పైగా జాతులు ఈ బొరియలను వాడుకుంటాయని పరిశీలకులు లెక్కగట్టారు. కొన్ని పురుగులైతే ఈ బొరియల్లో తప్ప వేరేచోట కనిపించవు. తాబేలు తవ్వడం మానేస్తే వీటన్నిటికీ నీడ పోతుంది.

ఇల్లు ఇసుకలో ఉన్నా, తిండి మాత్రం పైన అడవి పెట్టాలి. ఆ అడవి లాంగ్‌లీఫ్ పైన్ చెట్లది. యూరోపియన్లు రాకముందు వర్జీనియా నుంచి టెక్సస్ దాకా సుమారు 9 కోట్ల ఎకరాల్లో ఈ చెట్లు ఉండేవి. దట్టమైన అడవి అనుకుంటే పొరపాటు. చెట్టుకూ చెట్టుకూ మధ్య బోలెడు ఎడం. నేల మీద వైర్‌గ్రాస్ అనే సన్నగడ్డి, రకరకాల పూలమొక్కలు. గడ్డీ లేత ఆకులూ మేసే తాబేలుకు నేల దాకా ఎండ పడే అలాంటి అడవే కావాలి.

ఎండ పడాలంటే మంట రావాలి. కొంత పిడుగులు పడటం వల్ల, కొంత స్థానిక ఆదివాసులు పెట్టడం వల్ల, ఒక్కోచోట రెండు మూడేళ్లకోసారి మంట నేలబారుగా పాకిపోయేది. లాంగ్‌లీఫ్ మొక్క మొదటి కొన్నేళ్లు గడ్డి దుబ్బులా నేలకు అంటుకుని ఉండి, చుట్టూ ఉన్న పొడవాటి ఆకులతో మొగ్గను మంట నుంచి కాచుకుంటుంది. వైర్‌గ్రాస్ బాగా పూసి గింజ పట్టడానికి వేసవి మంట కావాలి. నీడపరిచే ఓక్ మొక్కలు ఆ మంటకు తట్టుకోలేవు. నిప్పు వచ్చినప్పుడు తాబేలు బొరియలోకి దూరుతుంది, దాని వెంట పాములు, కప్పలు, ఎలుకలు కూడా. పైన మంట కాసేపట్లో దాటిపోతుంది, కొన్ని వారాలకు లేత గడ్డి మొలుస్తుంది.

విలియం బార్‌ట్రమ్ అనే ప్రకృతి పరిశీలకుడు 1773 నుంచి 1777 దాకా ఈ అడవుల్లో తిరిగాడు. 1791లో అచ్చయిన తన యాత్రా గ్రంథంలో ఈ తాబేలును వర్ణించాడు. 1802లో ఫ్రెంచి శాస్త్రవేత్త ఫ్రాన్సువా మారీ దోదాఁ దీనికి శాస్త్రనామంలో ‘పాలిఫీమస్’ అన్న మాట చేర్చాడు. గ్రీకు కథల్లో గుహలో కాపురముండే ఒంటికన్ను రాక్షసుడి పేరది. జనం మాత్రం గోఫర్ అనే పిలిచారు. అమెరికాలో మిగతాచోట్ల గోఫర్ అంటే మట్టి తవ్వే ఎలుకలాంటి జంతువు. ఫ్లోరిడా పాతకాలపువాళ్లు ఆ జంతువును సాలమాండర్ అని, తాబేలును గోఫర్ అని అనేవారు. బయటివాళ్లకు ఈ రెండు పేర్లూ తికమకే.

అడవి పతనం చెట్ల బంకతో మొదలైంది. కర్ర ఓడల కాలంలో పలకల సందులు పూడ్చడానికి తారు, రంగులకు టర్పెంటైన్ కావలసి వచ్చేవి. లాంగ్‌లీఫ్ చెట్టు మొదట్లో గొడ్డలితో గుంటలాగా చెక్కి, అందులో ఊరే బంకను తోడుకునేవారు. గాయపడ్డ చెట్లు గాలికి విరిగిపడేవి. 1900 తర్వాత చార్లెస్ హెర్టీ అనే రసాయన శాస్త్రవేత్త చెట్టుకు మట్టి కప్పు తగిలించి బంక పట్టే పద్ధతి తెచ్చాడు. చెట్లకు గాయాలు తగ్గాయి. అప్పటికే పెద్ద దెబ్బ వేరే వైపు నుంచి తగులుతోంది. అమెరికా అంతర్యుద్ధం ముగిశాక రైలు మార్గాలు, వాటి వెంట రంపపు మిల్లులు దక్షిణాదికి వచ్చాయి. 1880ల నుంచి 1920ల దాకా, అంటే ఒక మనిషి జీవితకాలం నిండకముందే, ఆ అడవిలో చాలా భాగం కలపగా వెళ్లిపోయింది. కొట్టేసిన చోట్ల కొన్ని పొలాలయ్యాయి. మిగతావాటిలో త్వరగా పెరిగే లాబ్‌లాలీ, స్లాష్ పైన్ మొక్కలను గుబురుగా నాటారు. వాటి కింద నేల మీద ఎండ పడదు, గడ్డి మొలవదు, తాబేలుకు తిండి ఉండదు. 1990ల నాటికి లాంగ్‌లీఫ్ అడవి దాదాపు 30 లక్షల ఎకరాలకు కుంచించుకుపోయింది.

ఇదే కాలంలో తాబేలు పేదల కూర కూడా. ఆదివాసులు పూర్వం నుంచీ తింటూనే ఉన్నారు. తర్వాత బంక తీసే కూలీలు, చిన్నరైతులు, నల్లవాళ్లూ తెల్లవాళ్లూ తిన్నారు. బొరియలోంచి తాబేలును లాగడం చేయి తిరిగిన పని. పొడవాటి కర్రకో తీగకో కొసన కొక్కెం కట్టి, సొరంగం వంపులకు తగ్గట్టు మెల్లగా లోపలికి జొనిపేవారు. కొక్కెం డిప్పకు టక్కుమని తగిలిందా, రాయి తగిలిందా అన్నది చేతికి తెలిసిపోయేది. డిప్ప అంచుకు తగిలించి కొంచెం కొంచెంగా లాగేవారు. అంత ఓపిక లేనివాళ్లు గుమ్మం ముందు డబ్బా పాతిపెట్టేవారు. బయటికి వచ్చిన తాబేలు అందులో పడేది. 1929 తర్వాతి ఆర్థిక మాంద్యంలో దీనికి ‘హూవర్ చికెన్’ అన్న పేరొచ్చింది. అప్పటి అధ్యక్షుడు హెర్బర్ట్ హూవర్ మీద కోపం ఆ పేరులో ఉంది. ఆకలితో ఉన్న ఇంట్లో కుండలో పడ్డ తాబేలును తప్పుపట్టలేం. అయితే తరాలు మారినా అలవాటు ఆగలేదు, తాబేళ్లు మాత్రం తగ్గుతూ వచ్చాయి.

బొరియ మీద పడ్డ మరో దెబ్బ పెట్రోలు. అలబామా, జార్జియాల్లో గిలక పాములను పట్టి తెచ్చే పోటీలు జరిగేవి. పాములు చలికాలం తాబేటి బొరియల్లో తలదాచుకుంటాయి. పట్టేవాళ్లు గొట్టం దూర్చి పెట్రోలు పోసేవారు. ఆ ఆవిరికి పాము బయటికి వచ్చేది, లోపల మిగిలినవి చచ్చిపోయేవి లేదా బొరియ పనికిరాకుండా పోయేది. జార్జియాలోని క్లాక్స్‌టన్ పట్టణం 2012లో తన పోటీని పాములు పట్టడం లేని వన్యప్రాణి ఉత్సవంగా మార్చుకుంది.

ఇంతకంటే పెద్ద నష్టం మంచి ఉద్దేశంతో జరిగింది. 1920ల చివర్లో అటవీ ప్రచారకులు ట్రక్కుల్లో సినిమా యంత్రాలు వేసుకుని ఫ్లోరిడా, జార్జియా, మిసిసిపీ ఊళ్లు తిరిగి అడవికి నిప్పు శత్రువని చెప్పారు. 1944లో వచ్చిన స్మోకీ బేర్ అనే ఎలుగుబంటి ప్రచార బొమ్మ ఆ మాటను ఇంటింటికీ చేర్చింది. నరికివేత నుంచి తప్పించుకున్న అడవి కూడా మంట లేక ఓక్ పొదలతో మూసుకుపోయింది. చెట్లు నిలబడే ఉన్నాయి, తాబేళ్లు మాత్రం మేత లేక రోడ్ల అంచులకు, పొలం గట్లకు చేరాయి.

దీన్ని ముందుగా పసిగట్టింది అడవికోళ్ల లాంటి క్వెయిల్ పిట్టలను అధ్యయనం చేసినవాళ్లు. జార్జియాలోని థామస్‌విల్, ఫ్లోరిడాలోని టల్లహాసీ మధ్య వేట ఎస్టేట్లలో పనిచేసిన హెర్బర్ట్ స్టాడర్డ్ 1931లో అచ్చయిన పుస్తకంలో, మంట పెట్టకపోతే ఈ పిట్టలు నిలవవని వివరించాడు. అప్పట్లో అది ఎదురీతే. ఆ ప్రాంతంలోనే 1958లో టాల్ టింబర్స్ పరిశోధన కేంద్రం మొదలైంది, 1962 నుంచి నిప్పు మీద సదస్సులు నడిపింది. అదుపులో పెట్టే మంటకు ఫ్లోరిడా 1990లో చట్టం చేసి రక్షణ కల్పించింది. పిట్టల కోసం కాపాడిన ఆ ఎస్టేట్లలో తాబేళ్లు కూడా బతికిపోయాయి. ఫిరంగుల గుళ్లకు తరచూ నిప్పు అంటుకునే సైనిక శిక్షణ భూముల్లోనూ అంతే: ఫ్లోరిడాలోని ఎగ్లిన్ వైమానిక స్థావరంలో నేటికీ విస్తారమైన లాంగ్‌లీఫ్ అడవి ఉంది.

1982లో వాల్టర్ ఆఫెన్‌బర్గ్, రిచర్డ్ ఫ్రాంజ్ ఇచ్చిన అంచనా ప్రకారం వందేళ్లలో ఈ తాబేళ్లు 80 శాతం తగ్గాయి. 1987లో కేంద్ర ప్రభుత్వం అలబామాలోని మొబీల్, టోంబిగ్బీ నదులకు పడమరనున్నవాటిని ‘ముప్పున్న’ జాతిగా ప్రకటించింది. తూర్పున ఉన్నవి ఆ పట్టికలోకి రాలేదు. 2011లో అర్హత ఉందన్నా, 2022 అక్టోబరులో అవసరం లేదని తేల్చారు. అందువల్ల తూర్పు తాబేళ్ల రక్షణ రాష్ట్రాల మీదే పడింది.

వాటిలో పెద్ద బాధ్యత ఫ్లోరిడాది, పెద్ద చిక్కూ దానిదే. ఆ రాష్ట్ర జనాభా 1950లో దాదాపు 28 లక్షలు, 2020 నాటికి 2 కోట్ల 15 లక్షలు. తాబేలు కోరుకునే ఎత్తైన ఇసుక దిబ్బే ఇళ్లకూ అనువైన చోటు. 1988లో తాబేళ్లను పట్టడం నిషేధించారు. కానీ 1991 నుంచి బిల్డర్లకు మరో దారి దొరికింది: నిర్ణీత రుసుము కడితే బొరియల మీదే వెంచరు వేసుకోవచ్చు. ఆ సొమ్ముతో ప్రభుత్వం వేరేచోట భూమి కొనేది. బుల్డోజరు గుమ్మం పూడ్చేస్తే తాబేలు వెంటనే చావదు. నెమ్మదిగా సాగే ప్రాణం కాబట్టి మట్టి కింద వారాలు, నెలలు కూడా కొట్టుకుంటుంది. ఈ విషయం పత్రికలకెక్కాక జనం ఊరుకోలేదు. 2007లో ఆ పర్మిట్ల విధానం ఆగింది. అదే ఏడాది ఫ్లోరిడా ఈ తాబేలును ముప్పున్న జాతుల్లో చేర్చింది. ఇప్పుడు బొరియకు 25 అడుగుల లోపు మట్టి కదిలించాలన్నా, ముందు పర్మిట్ తీసుకుని తాబేలును వేరేచోటికి చేర్చాలి. టాంపా, ఆర్లాండో, జాక్సన్‌విల్ శివార్లలో ఇళ్లు కట్టుకునే తెలుగు కుటుంబాలకూ ఈ నిబంధన వర్తిస్తుంది.

తరలింపు అనుకున్నంత తేలిక కాదు. కొత్తచోట వదిలిన తాబేలు పాత ఇంటి దిక్కుగా నడక మొదలుపెడుతుంది. అందుకే కొత్త నేల చుట్టూ గుడ్డ కంచె కట్టి, ఆరు నెలల నుంచి ఏడాది దాకా లోపలే ఉంచుతారు. అప్పటికి అది అక్కడ బొరియ తవ్వుకుని స్థిరపడుతుంది. ఆ నేల యజమాని కూడా ఆ చోటును శాశ్వతంగా కట్టడాలకు ఇవ్వనని ఒప్పుకోవాలి, మంట పెట్టాలి, పొదలు కొట్టాలి. ఫ్లోరిడా పశ్చిమాన ఎం.సి. డేవిస్ అనే వ్యాపారి పైన్ తోటలు కొని నెలకొల్పిన నోకూస్ అభయారణ్యానికి ఇలా తరలించిన తాబేళ్లు పెద్ద సంఖ్యలో చేరాయి. మిసిసిపీలోని క్యాంప్ షెల్బీ సైనిక శిక్షణ భూమిలో పద్ధతి వేరు: గుడ్లు సేకరించి పిల్లలను రెండు మూడేళ్లు లోపలే పెంచి, డిప్ప గట్టిపడ్డాక అడవిలో వదులుతారు.

అడవిని తిరిగి పెంచే పని 2009లో ఊపందుకుంది. అప్పటికి 34 లక్షల ఎకరాలున్న లాంగ్‌లీఫ్‌ను 80 లక్షలకు పెంచాలని ప్రభుత్వ శాఖలు, స్వచ్ఛంద సంస్థలు, భూస్వాములు కలిసి లక్ష్యం పెట్టుకున్నారు. అది అందకపోయినా విస్తీర్ణం సుమారు 50 లక్షలకు చేరింది. ఫ్లోరిడాలోని అపలాచికోలా నది ఒడ్డున ఉన్న అభయారణ్యంలో మళ్లీ నాటిన వైర్‌గ్రాస్ మధ్య తాబేళ్లు బొరియలు తవ్వుకున్నాయి. 2017 నుంచి అక్కడ ఏటా ఇండిగో పాములను ఆ బొరియల దగ్గర వదిలారు. 2023లో, ఎవరూ పెంచి తెచ్చినవి కాని, అక్కడే పుట్టిన ఇండిగో పాము పిల్లలు కనిపించాయి.