నిచ్చెన వెనుక ఆవర్జా

శివరాత్రి జాగారానికి వైకుంఠపాళి పటం పరుచుకుని కూర్చోవడం మా బరంపురం తెలుగు ఇళ్ళలో నా చిన్నప్పటి మాట. ఆ పటంలో ఆడేవాడి ప్రతిభ ఏమీ లేదు. గవ్వలు ఎలా పడితే అలా నడక. నిచ్చెన దొరికితే పైకి, పాము నోట పడితే కిందికి. ఓడినవాడు తన ఖర్మ అనుకునేవాడు తప్ప తనను తాను తక్కువవాడినని అనుకునేవాడు కాదు.

ఇప్పుడు పిల్లలు కంప్యూటరులోనూ ఫోనులోనూ ఆడే పోటీ ఆటల్లో మరో రకం నిచ్చెన ఉంది. కంచు, వెండి, బంగారం, ప్లాటినం, వజ్రం అంటూ అంతస్తులు. ఒక్కొక్క అంతస్తులో మళ్ళీ మెట్లు. గెలిస్తే పాయింట్లు పెరుగుతాయి, ఓడితే తరుగుతాయి. నిండితే ప్రమోషన్, అడుగంటితే దిగువ మెట్టు. ఇక్కడ గవ్వలు లేవు. కిందికి జారినవాడు ఖర్మ అని సరిపెట్టుకోలేడు. ‘నేను ఇంతే’ అనుకుంటాడు.

బీకాం చదివి, ముప్పయ్యేళ్ళుగా బ్యాంకులో పద్దులు చూస్తున్నవాడిని కనుక నాకు నిచ్చెన కన్నా దాని లెక్క మీద ఆసక్తి కలిగింది. ఈ పాయింట్లు ఎవరు వేస్తారు, ఎక్కడ రాస్తారు? వెతుక్కుంటూ పోతే నూట ముప్పయ్యేళ్ళ చరిత్ర కనిపించింది. ఆ చరిత్రలో నడుమ ఒకచోట లెక్కల పుస్తకం ఆడేవాడి కళ్ళ ముందు నుంచి మాయమయింది. ఆ సంగతి చెప్పడానికే ఈ వ్యాసం.

ముందు ఫుట్‌బాల్ మైదానానికి వెళ్ళాలి. ఇంగ్లండులో 1888లో పన్నెండు క్లబ్బులతో ఫుట్‌బాల్ లీగ్ మొదలయింది. 1892లో రెండవ డివిజను వచ్చింది. పై డివిజనులో అడుగున ఉన్నవారూ కింది డివిజనులో ముందున్నవారూ ఎవరు ఎక్కడ ఉండాలో తేల్చుకోవడానికి 1893 నుంచి ‘టెస్ట్ మ్యాచ్‌లు’ పెట్టారు. అంటే ఏడాదంతా ఆడి సంపాదించుకున్న స్థానం చాలదు, గడప దగ్గర మరో పరీక్ష రాయాలి. 1898లో స్టోక్, బర్న్‌లీ జట్లు ఈ పరీక్షలో చివరి ఆటకు వచ్చేసరికి, ఆట సమమైతే చాలు, ఇద్దరికీ పై డివిజనులో చోటు ఖాయం. ఇంకేముంది, గోలు లేకుండా 0–0గా ముగిసింది. గగ్గోలు పుట్టింది. లీగువారు పై డివిజనును పదహారు నుంచి పద్దెనిమిది జట్లకు పెంచి ఆ ఏటికి అందరినీ సర్దారు. టెస్ట్ మ్యాచ్‌లను రద్దుచేశారు. ఆపైన చాలాకాలం స్థానాన్ని బట్టే ప్రమోషన్. గడప దగ్గర పరీక్ష అనే ఈ పద్ధతిని గుర్తుంచుకోండి, మళ్ళీ వస్తుంది.

ఫుట్‌బాల్ జట్లు పదుల్లో ఉంటాయి, అందరూ అందరితో ఆడతారు. చదరంగంలో ఆ వీలు లేదు. వేలమంది ఆటగాళ్ళు, వేరువేరు ఊళ్ళు. ఒకరినొకరు జన్మలో చూడని ఇద్దరిలో ఎవరు గట్టివారు? 1948లో జర్మనీలో ఇంగోల్‌స్టాట్ ఊరివాడయిన ఆంటోన్ హోస్లింగర్ ఒక పద్ధతి కట్టి దానికి తన ఊరి పేరు మీద ‘ఇంగో’ అని పేరుపెట్టాడు. అందులో అంకె ఎంత చిన్నదైతే ఆటగాడు అంత గొప్పవాడు. 1950లో అమెరికా చదరంగ సమాఖ్య కెనెత్ హార్క్‌నెస్ పద్ధతి తీసుకుంది. ఎదుటివారి అంకెల సగటు తీసి, నూటికి యాభై పాళ్ళకు పైన తెచ్చుకున్న ఒక్కొక్క పాలుకు పది పాయింట్లు కలపడం అందులోని కిటుకు. లెక్క సులువే కానీ అప్పుడప్పుడు వింత ఫలితాలు ఇచ్చేది.

దాన్ని సరిచేసినవాడు ఆర్పాద్ ఎలో. 1903లో హంగరీలో పుట్టి, పదేళ్ళప్పుడు తల్లిదండ్రులతో అమెరికా చేరి, మిల్వాకీలోని మార్కెట్ విశ్వవిద్యాలయంలో భౌతికశాస్త్రం చెప్పిన ఆచార్యుడు. విస్కాన్సిన్ రాష్ట్రానికి ఎనిమిదిసార్లు చదరంగ విజేత కూడా. ఆయన పద్ధతిని అమెరికా సమాఖ్య 1960లోనూ అంతర్జాతీయ సమాఖ్య ఫిడే 1970లోనూ చేపట్టాయి.

ఎలో చేసినది మా కామర్సువాళ్ళకు ఇట్టే అర్థమయ్యే పని. అది జంటపద్దు లెక్క. 2000 పాయింట్లవాడు, 1800 పాయింట్లవాడు ఆడారనుకుందాం. రెండువందల తేడాకు పెద్దవాడికి రావలసిన వాటా సుమారు 0.76, చిన్నవాడికి 0.24. ఆట ముగిశాక వచ్చినదానికీ రావలసినదానికీ తేడా తీసి, ఒక గుణకంతో, ఇరవై అనుకోండి, హెచ్చవేయాలి. పెద్దవాడు గెలిస్తే అతనికి 4.8 జమ, చిన్నవాడికి 4.8 ఖర్చు. చిన్నవాడే గెలిస్తే అతనికి 15.2 జమ, పెద్దవాడికి అంతే ఖర్చు. సమమైనా చిన్నవాడికి 5.2 జమే. ఒకరి జమ మరొకరి ఖర్చు. సాయంత్రానికి పుస్తకం సరితూగుతుంది.

అయితే ఫిడే కొత్తవారికి 40, మామూలువారికి 20, ఒకసారి 2400 చేరినవారికి 10 అని గుణకాలు వేరుచేసింది. వేర్వేరు గుణకాలవాళ్ళు ఆడితే జమాఖర్చులు సరిపోవు. బ్యాంకులో అయితే ఆ రాత్రి ఇంటికి వెళ్ళనివ్వరు. కొత్తవాడి అసలు స్థాయి త్వరగా తేలాలి, నిలదొక్కుకున్నవాడి అంకె ఒక్క ఓటమికి కుప్పకూలకూడదు. అందుకే ఆ ఏర్పాటు.

ఈ లెక్కలోని గొప్పతనం ఏమంటే, ఎవరయినా కాగితం మీద వేసి సరిచూసుకోవచ్చు. ఆవర్జా బల్ల మీద తెరిచే ఉంది. (మా ముందుతరం కోమట్ల కొట్లలో రోజువారీ పుస్తకం చిట్టా, ఖాతాల పుస్తకం ఆవర్జా. లెడ్జరు మాట తరవాత వచ్చింది.) గుడివాడలో పుట్టిన కోనేరు హంపి 2002లో పదిహేనేళ్ళకే గ్రాండ్‌మాస్టరు అయినా, 2007లో 2600 దాటిన రెండవ మహిళ అయినా, 2024 డిసెంబరు జాబితాలో వరంగల్లు కుర్రాడు అర్జున్ ఇరిగైసి 2801 దగ్గర నిలిచినా, మాస్కోవాడిని తూచిన తక్కెడలోనే తూచారు. సిఫారసుకు అందులో చోటులేదు. గ్రాండ్‌మాస్టరు బిరుదు జీవితాంతం ఉంటుంది, రేటింగు మాత్రం నెలనెలా మారుతుంది. బిరుదు వేరు, నిల్వ వేరు. తన కొలత పరమ సత్యమని ఎలో కూడా అనుకోలేదు. నీటిలో ఎగిరెగిరిపడే బిరడా ఎక్కడుందో, గాలికి ఊగే తాడుకు కట్టిన గజంబద్దతో కొలిచినట్లే ఇదీ అని పోలిక చెప్పాడు.

ఆ ఊగిసలాటను కూడా లెక్కలోకి తెచ్చినవాడు మార్క్ గ్లిక్‌మన్. 1995 నాటి ఆయన ‘గ్లికో’ పద్ధతిలో ఒక్కొక్కరికి రెండు అంకెలు. ఒకటి రేటింగు, రెండవది ఆ రేటింగును ఎంతవరకు నమ్మవచ్చో చెప్పేది. చాలాకాలం ఆడకుండా ఉంటే రేటింగు తగ్గదు కానీ దాని మీద నమ్మకం తగ్గుతుంది. లావాదేవీలు లేని ఖాతాను మేము విడిగా పెట్టి, ఖాతాదారు తిరిగి వచ్చినప్పుడు వివరాలు మళ్ళీ అడిగినట్లన్నమాట.

2005లో ఎక్స్‌బాక్స్ 360 వచ్చినప్పుడు మైక్రోసాఫ్ట్‌వారి కేంబ్రిడ్జి పరిశోధకులు హెర్బ్రిచ్, మింకా, గ్రేపెల్ ‘ట్రూస్కిల్’ తెచ్చారు. జట్టుగా ఆడే ఆటలో ఒక్కొక్కడి బలం ఎంతో అంచనా వేయడం దాని పని. కొత్తవాడి బలం 25 అని, సందేహం అందులో మూడోవంతు అని మొదలుపెడతారు. చూపించే అంకె మాత్రం బలంలోంచి సందేహానికి మూడింతలు తీసివేసినది. అంటే కొత్తవాడికి సున్నా. రాబోయే లాభాన్ని ముందే జమకట్టకు, రాగల నష్టానికి ముందే కేటాయించు అని మా కామర్సు పాఠం. ఇది అదే. ఆటలు పెరిగేకొద్దీ సందేహం తరుగుతుంది, అంకె పైకి వస్తుంది.

ఇక్కడ మొదటిసారి చూపించే అంకె, అసలు అంకె వేరుపడ్డాయి. తరవాత వచ్చిన ఆటల కంపెనీలు ఈ ఎడాన్ని బాగా వాడుకున్నాయి. బ్లిజార్డ్ వారి స్టార్‌క్రాఫ్ట్‌కు 1998 నుంచే నిచ్చెన ఉండేది. 2010లో వచ్చిన రెండవ స్టార్‌క్రాఫ్ట్‌లో కంచు మొదలు వజ్రం దాకా లీగులు పెట్టి, ఆటగాళ్ళను సుమారు నూరేసి మందిగా విడదీశారు. లక్షలాదిమందిలో ఎక్కడో ఉన్నవాడు తన నూరుమందిలో ఏడవవాడినని సంతోషించవచ్చు. ఎవరితో ఎవరిని ఆడించాలో నిర్ణయించే అసలు అంకెను మాత్రం దాచారు.

రయట్ కంపెనీ ‘లీగ్ ఆఫ్ లెజెండ్స్’ కథ ఇంకా స్పష్టం. అయిదుగురు అయిదుగురితో తలపడే ఆట ఇది. 2010లో పోటీలు మొదలయినప్పుడు ఎలో అంకె అందరికీ కనబడేది. 2013లో దాన్ని తెర వెనక్కు పంపి, కంచు నుంచి ‘ఛాలెంజర్’ వరకు అంతస్తులు కట్టారు. ఛాలెంజర్ తప్పిస్తే ఒక్కొక్క అంతస్తుకు అయిదు మెట్లు. మెట్టు మీద నూరు పాయింట్లు నిండితే ప్రమోషన్ సిరీస్. మెట్టు మారడానికి మూడింట రెండు గెలవాలి, అంతస్తు మారడానికి అయిదింట మూడు. చూశారా, 1893 నాటి గడప పరీక్ష మళ్ళీ వచ్చింది!

లోపల జరిగేది ఇది. పైకి కనిపించే పాయింట్లు పాస్‌బుక్కు, దాచిన అంకె ఆవర్జా. జోడీలు కుదిర్చేది ఆవర్జాను చూసే. ఆవర్జాలో నిల్వ ఎక్కువుండి పాస్‌బుక్కు వెనుకబడితే, గెలిచినప్పుడు ఎక్కువ పాయింట్లు పడతాయి, ఓడినప్పుడు తక్కువ పోతాయి. పాస్‌బుక్కు పరుగెత్తి ఆవర్జాను అందుకుంటుంది. పాస్‌బుక్కే ముందుంటే అంతా తిరగబడుతుంది. గెలిచినా చిల్లరే పడుతుంది, ఓడితే నోట్లే పోతాయి.

ఇంకొక సంగతి. యంత్రం ఎప్పుడూ సరిజోడునే తెచ్చి కూర్చోబెడుతుంది కనుక, తన స్థాయి చేరినవాడు ఎంత మంచి ఆటగాడయినా సుమారు సగం ఆటలు ఓడిపోతాడు. బంగారంవాడూ అంతే, వజ్రంవాడూ అంతే. తక్కినవారికన్నా వేగంగా ఆట మెరుగుపడితేనే పైకి కదులుతాడు. సగం ఓడటం చేతకానితనం కాదు, తక్కెడ సరిగ్గా ఉందనడానికి గుర్తు.

ఇది తెలియక ఎంత బాధపడతారో మా ఇంట్లోనే చూశాను. 2019లో మా అక్కయ్య కొడుకు బెంగుళూరులో చదువుకునేవాడు. సెలవులకు వచ్చి ఒకరోజు అన్నం కూడా తినకుండా కూర్చున్నాడు. ఏమిటిరా అంటే, ‘ప్రమోషన్ సిరీస్ పోయింది మామయ్యా, నాలుగోసారి’ అన్నాడు. ‘నిన్న గెలిస్తే పదిహేను వచ్చాయి, ఇవాళ ఓడితే ఇరవైరెండు పోయాయి. నేనేం తప్పు చేశానో చెప్పేవాడు లేడు’ అన్నాడు. వాడిని బాధపెట్టింది ఓటమి కాదు. లెక్క తెలియకపోవడం.

ఆ మాట నాకు కొత్తగా అనిపించలేదు. 1979 నాటి సర్వీసు నిబంధనలు ప్రభుత్వ బ్యాంకుల్లో మా అధికారుల నిచ్చెనకు ఏడు మెట్లు పెట్టాయి. రాతపరీక్ష ఉండవచ్చు, ఇంటర్వ్యూ ఉండవచ్చు, వాటితోపాటు పై అధికారి రాసే రహస్య నివేదిక ఒకటి. నేను చేరిన రోజుల్లో అందులో ఏమి రాశారో రాయించుకున్నవాడికి తెలిసేది కాదు. జాబితాలో పేరు లేదని మాత్రం తెలిసేది. 2008లో దేవ్‌దత్ కేసులో సుప్రీంకోర్టు దీనిమీద తీర్పు చెప్పింది. ఆయన సరిహద్దు రోడ్ల సంస్థ ఇంజనీరు. ప్రమోషనుకు ‘చాలా బాగు’ ఉండాలి, ఒక ఏడాదికి ఆయనకు ‘బాగు’ అని రాశారు, ఆ సంగతి చెప్పలేదు. చెడ్డదే కాదు, నివేదికలోని ప్రతి పద్దునూ ఉద్యోగికి తెలపాలని కోర్టు అన్నది.

ఆటల లోకంలోనూ కొంత ఇలాగే జరిగింది. 2016లో స్టార్‌క్రాఫ్ట్ రెండు దాచిన అంకెను ఆటగాళ్ళకు చూపించసాగింది. లీగ్ ఆఫ్ లెజెండ్స్ 2021 పోటీలకు ముందు మెట్టుమెట్టుకూ ఉన్న సిరీస్‌ను ఎత్తివేసింది. ఇంగ్లండు లీగు అయిదేళ్ళలో నేర్చుకున్న పాఠానికి దానికి ఎనిమిదేళ్ళు పట్టింది.

కంపెనీల పక్షం కూడా చెప్పాలి. అంకె పచ్చిగా కనబడితే కొందరు అది తగ్గుతుందన్న భయంతో ఆడటమే మానేస్తారు. అంతస్తు చేరాక ఒకటి రెండు ఓటములకు కింద పడకుండా కాపు ఉంటే ధైర్యంగా ఆడతారు. ఇది నిజమే. కానీ మెట్టు పక్కన మెట్టు, ఏటేటా మళ్ళీ కొత్త లెక్క, ఇవన్నీ ఆటగాడిని కుర్చీలోంచి లేవనివ్వకుండా ఉంచడానికి కూడా పనికివస్తాయి. కొలవడానికి పుట్టిన అంకెను ఎర వేయడానికి వాడుతున్నప్పుడు, ఏది కొలతో ఏది ఎరో ఆడేవాడికి తెలియాలి. కాపు కావాలంటే పెట్టండి, ఆవర్జాను మాత్రం తెరిచి పెట్టండి. అడిగిన ఖాతాదారుకు నిల్వ చెప్పని బ్యాంకు మీద ఎవరికి నమ్మకం ఉంటుంది?

ఎలో 1992లో పోయాడు. ఆయన పేరు ఇవాళ లక్షలాది పిల్లల నోట నలుగుతోంది. అది ఒక మనిషి పేరని తెలియక మూడు ఇంగ్లీషు అక్షరాల పొట్టిపేరు అనుకునేవాళ్ళే ఎక్కువ. మన ఇళ్ళలో ఈ ఆటల మాటలకు తెలుగు కూడా ఇంకా కుదరలేదు. నేను నిచ్చెన, అంతస్తు, మెట్టు, ఆవర్జా అని రాశాను. హోసూరు, బళ్ళారి, షోలాపూరు, యానాం పాఠకుల ఇళ్ళలో పిల్లలు ఏమంటున్నారో రాస్తే తెలుసుకుంటాను. అడిగే పెద్దలు ‘ఏ అంతస్తుకు వచ్చావురా’ అని మాత్రమే అడగకండి. ‘లెక్క ఎలా వేస్తారురా’ అని కూడా అడగండి. వాళ్ళు చెబుతారు, తెలియకపోతే వెతుకుతారు.