తోపు లేని పై

“అవ్వా, ఈసారి నాకు నువ్వు ఆపిల్ పై చేసిపెట్టాలి” అంది మా మనవరాలు, బెంగుళూరు నుంచి వచ్చి ఇంకా చెప్పులైనా విప్పకుండానే.

“పైనా? పైన ఏముందే, బూజు తప్ప!” అన్నాను అటకకేసి చూస్తూ.

అది పడీపడీ నవ్వింది. పై అంటే పైన ఉండేది కాదట. మైదాపిండిని వెన్నతో కలిపి పొరలా ఒత్తి, అందులో ఆపిల్ ముక్కలు నింపి, మీద ఇంకో పొర కప్పి ఓవెన్‌లో కాల్చేదట. ఓస్, ఇంతేనా అనుకున్నాను. మన ఓళిగే గదా! కోస్తావాళ్ళు బొబ్బట్టు అంటారే, అదే. మనం శనగపప్పు పూర్ణాన్ని తోపులో పెట్టి పెనం మీద కాలుస్తాం. వాళ్ళు ఆపిల్ పూర్ణాన్ని తోపులో పెట్టి పొయ్యిలో కాలుస్తారు. పూర్ణం మారింది, అంతే.

తీరా వంటింట్లోకి వెళ్ళి చూసుకుంటే, ఆపిల్ పళ్ళయితే ఉన్నాయి. ఆ వారమే మావారికి జ్వరం వచ్చి తగ్గింది లెండి. మా అనంతపురంలో చాలాకాలం ఆపిల్ అంటే పండు కాదు, పరామర్శ! మంచం పక్కన ఆపిల్ పళ్ళ సంచీ కనబడిందంటే ఆ ఇంట్లో ఎవరికో ఒంట్లో బాగాలేదన్నమాటే. సరే, పళ్ళున్నాయి. మైదా లేదు. వెన్న లేదు. ఓవెన్ మా ఇంట ఎన్నడూ లేదు. ఉన్నవల్లా జొన్నపిండి, నెయ్యి, బెల్లం, చెనక్కాయలు.

“ఇన్ని లేకుండా పై ఎట్లా అవుతుందవ్వా?” అని పిల్ల మొహం ముడుచుకుంది.

ఆ “లేకుండా” అన్న మాట దగ్గరే నేను ఆగిపోయాను. లేకుండా వండుకోవడం ఎట్లాగో అనంతపురం ఆడవాళ్ళకు ఒకరు నేర్పాలా? ఏడాది పొడుగునా కురిసేది సుమారు 550 మిల్లీమీటర్లు. అదీ కురిస్తే! పిల్లను స్నానానికి తరిమి, ఈ పై సంగతి ఏమిటో చూద్దామని చదవడం మొదలుపెట్టాను. చదివేకొద్దీ తెలిసిందేమిటంటే, ఆ పైకి తోపు రావడానికీ, తోపు పోవడానికీ కూడా పెద్ద కథే ఉంది.

సుమారు 1390లో ఇంగ్లండు రాజు రెండవ రిచర్డు వంటవాళ్ళు ఒక వంటల పుస్తకం కూర్చారు. పేరు ‘ఫోర్మ్ ఆఫ్ క్యూరీ’. ఆపిల్ పై చేసే పద్ధతి అందులో ఉంది. ఆపిల్ పళ్ళతోబాటు అంజూరాలు, ఎండుద్రాక్ష, పియర్ పళ్ళు, సుగంధ ద్రవ్యాలు, రంగుకు కుంకుమపువ్వు వాడమన్నారు. చక్కెర ప్రసక్తే లేదు. ఆ రోజుల్లో ఐరోపాలో చక్కెర చాలా ప్రియం. ఇదంతా ‘కాఫిన్’లో పెట్టి కాల్చమన్నారు. కంగారుపడకండి. ఇప్పుడు ఆ మాటకు శవపేటిక అని అర్థం గానీ, అప్పట్లో ఉత్త పెట్టె, బుట్ట అనే అర్థం. పిండితో చేసిన ఆ పెట్టెలో పళ్ళో మాంసమో పెట్టి కాల్చేవారు.

అంటే చూశారా, తోపు మొదట గిన్నె పని చేసింది! రుచి సంగతి తర్వాత వచ్చింది. మన విస్తరాకులాంటిదన్నమాట. భోజనం చేశాక విస్తరాకు ఎందుకు నమల్లేదని మనల్ని ఎవరైనా నిలదీశారా? ఇంటినిండా గిన్నెలున్న ఈ కాలంలో పిండితో గిన్నె చేయలేదని నేను చిన్నబోవడం దేనికి?

ఇంగ్లండు నుంచి వలస వెళ్ళినవాళ్ళతో తినే ఆపిల్, ఆపిల్ పై రెండూ అమెరికా చేరాయి. అంతకుముందు అక్కడ ఉన్నవి పుల్లటి అడవి ఆపిల్ కాయలే. 1796లో అమీలియా సిమన్స్ అనే ఆవిడ ‘అమెరికన్ కుకరీ’ అనే పుస్తకం అచ్చువేస్తే, అందులోనూ ఆపిల్ పై ఉంది. అటుపిమ్మట అది అమెరికావాళ్ళ సొంత సొత్తయి కూర్చుంది. మరి ఆపిల్ దొరకని చోట? అక్కడి ఇల్లాళ్ళు 19వ శతాబ్దంలోనే ఆ చిక్కు విప్పారు. ఉప్పు బిస్కెట్లను చక్కెర పాకంలో నానబెట్టి, పులుపు కలిపి, దాల్చినచెక్క పొడి చల్లి, ఆపిల్ లేని ఆపిల్ పై చేసేశారు! ఇంకొందరు ఎండిన బ్రెడ్డు పొడినీ ఆపిల్ ముక్కలనీ వరుసలు వరుసలుగా పేర్చి, తోపు లేకుండా ‘బ్రౌన్ బెట్టీ’ అని చేసుకున్నారు. ఒకరు పూర్ణం లేకుండా, ఒకరు తోపు లేకుండా! ఇల్లాలి తెలివికి ఏ దేశమైతేనేం?

అసలు మలుపు రెండవ ప్రపంచ యుద్ధంలో వచ్చింది. 1940 జనవరి 8న బ్రిటన్‌లో వెన్నకూ చక్కెరకూ రేషన్ పెట్టారు. కొలతలు మారుతూ వచ్చినా, చాలాకాలం మనిషికి వారానికి వెన్న 57 గ్రాములు, చక్కెర 227 గ్రాములు. ఆ వెన్నతో పైకి కింద ఒక పొర, మీద ఒక పొర ఎక్కడ వేస్తారు? అందుకని పిండిలో ఉన్నపాటి కొవ్వు వేసి, వేళ్ళతో నలిపి, పొడిపొడిగా పళ్ళ మీద చల్లి కాల్చుకున్నారు. ‘క్రంబుల్’ అన్నారు దాన్ని. అక్కడి ఇళ్ళలో అది బాగా పాతుకుపోయింది యుద్ధకాలంలోనే అంటారు. 1954 జూలైలో రేషన్ పూర్తిగా పోయింది. క్రంబుల్ మాత్రం పోలేదు. లేమిలో పుట్టిన వంట కలిమి వచ్చాక కూడా నిలిచిందంటే, దాని రుచి అటువంటిది మరి.

రేషన్ మాట వచ్చింది గనుక ఒక సంగతి చెప్పకుండా ఉండలేను. ఆ బ్రిటన్ వాళ్ళే మా సీమకూ ఒకప్పుడు రేషన్ పెట్టారు. 1876లో వానలు ముఖం చాటేశాయి. అది ధాత నామ సంవత్సరం గనుక ధాత కరువు అన్నారు. అప్పటికి అనంతపురం జిల్లా వేరుగా లేదు, బళ్ళారి జిల్లాలోనే ఉంది. 1882లో గానీ విడదీయలేదు. ఆ కరువు దారుణంగా దెబ్బతీసిన జిల్లాల్లో బళ్ళారి ఒకటి. 1877 జనవరి 1న ఢిల్లీలో విక్టోరియా రాణిని భారత సామ్రాజ్ఞిగా చాటుతూ దర్బారు, విందులు జరిగాయి. అదే నెలలో కరువు చూడడానికి వచ్చిన సర్ రిచర్డ్ టెంపుల్, కరువు పనుల్లో ఒళ్ళు వంచే మగవాడికి రోజుకు ఒక పౌను ధాన్యం, ఒక అణా చాలన్నాడు. పౌనంటే మన లెక్కన 450 గ్రాములు. తర్వాత కొంత పెంచారనుకోండి. కానీ ఆ పౌను ధాన్యాన్ని ఇంట్లో వాళ్ళందరికీ పంచి పెట్టవలసిన తల్లి ఏం చేసి ఉంటుంది? ఆమె వంట ఏ పుస్తకానికీ ఎక్కలేదు.

మా జేజి 1952 నాటి గంజి కేంద్రాల సంగతి చెప్పేది. కేంద్రాలు చూసిందని చెప్పేది గానీ, వరుసలో నిలబడ్డానని ఎప్పుడూ అనలేదు. మేమూ అడగలేదు. ఆమెకొక అలవాటుండేది. కోస్తా నుంచి చుట్టాలొస్తున్నారని తెలిస్తే చాలు, జొన్నరొట్టెల బుట్ట అటకెక్కించేసేది. ఎక్కడో దాచిన బియ్యం దించి వండేది. చుట్టాలున్నన్నాళ్ళూ మేం పిల్లలం రొట్టె మాటెత్తకూడదు. జొన్నరొట్టె తింటారంటే, పాపం వాళ్ళకు బియ్యం లేవు కాబోలు అనుకుంటారని ఆమె భయం. కడుపునిండా పెట్టిన తిండిని దాచిపెట్టుకోవలసి రావడం కంటే అవమానం ఇంకేముంటుంది?

ఆ రోజుల్లో మా మెట్ట నేలల్లో జొన్న, కొర్ర, రాగి బాగా పండేవి. ఆ తర్వాత చెనక్కాయ వచ్చి చేలన్నీ ఆక్రమించింది. 1983లో ఎన్.టి. రామారావు ప్రభుత్వం కిలో రెండు రూపాయలకు బియ్యం ఇచ్చాక, బీదా బిక్కీ అందరి ఇంటా వరి అన్నం ఉడికింది. అది మంచిదే, కాదనను. కానీ దానితో జొన్న మరీ చులకనైపోయింది. ఇప్పుడు మళ్ళీ డాక్టర్లు చెబితే, బెంగుళూరులో పొట్లాలు కట్టి అమ్మితే, మొక్కి మరీ కొనుక్కుంటున్నాం!

ఇక అసలు కిటుకు వినండి. గోధుమపిండిలో నీళ్ళు పోసి పిసికితే జిగురు సాగుతుంది. ఆ జిగురు వల్లే ఓళిగ తోపు సాగేది, పై పొర నిలిచేది. జొన్నకు, రాగికి, కొర్రకు ఆ జిగురు లేదు. అందుకే జొన్నరొట్టెను వేణ్ణీళ్ళతో కలిపి, అరచేత్తో తట్టి తట్టి బతిమాలవలసి వస్తుంది. మైదా పొరలాగా పల్చగా ఒత్తి కప్పాలంటే విరిగిపోతుంది. కానీ క్రంబుల్‌కు కావలసింది సరిగ్గా ఆ విరిగే గుణమే! ఇంగ్లీషు ఇల్లాలు గోధుమపిండిలో ముందు కొవ్వు పట్టించి, నీళ్ళు తగలకుండా జాగ్రత్తపడి, జిగురు పుట్టకుండా అవస్థపడింది. మన జొన్నకు ఆ బాధే లేదు. మనం లోపమనుకున్నది ఇక్కడ పనితనమై కూర్చుంది.

నేను చేసిన తీరు చెబుతాను. నాలుగు ఆపిల్ పళ్ళు చెక్కు తీసి, పలుచగా తరిగి, నల్లబడకుండా నిమ్మరసం పిండాను. మూడు చెంచాల బెల్లం తురుము, చిటికెడు దాల్చినచెక్క పొడి కలిపి వెడల్పాటి గిన్నెలో పరిచాను. మూకుడులో గ్లాసు జొన్నపిండిని, గ్లాసులో మూడోవంతు నెయ్యి వేసి, సన్నని సెగ మీద కమ్మని వాసన వచ్చేదాకా వేయించాను. పూర్తిగా చల్లారాక అర గ్లాసు బెల్లం తురుము, వేయించి కచ్చాపచ్చాగా దంచిన చెనక్కాయ పప్పు అర గ్లాసు, చిటికెడు ఉప్పు కలిపి ఆపిల్ ముక్కల మీద చల్లాను. వేడిమీద కలిపితే బెల్లం కరిగి ముద్దవుతుంది సుమండీ.

ఓవెన్ లేదంటిరా, పాత మందపాటి దబరలో రెండంగుళాల మందాన ఎండిన ఇసుక పోసి, మూతపెట్టి పది నిమిషాలు కాచాను. ఇసుక మీద కుదురు పెట్టి, దానిమీద గిన్నె దించి, మూత కాస్త ఓరగా వేసి, సన్నని సెగన ముప్పావు గంట ఉంచాను. ఓరగా ఎందుకంటే, ఆపిల్ ఆవిరి మూతకు పట్టి చుక్కలు చుక్కలుగా కారితే పైపొడి మెత్తబడిపోతుంది. ఇసుక సెగ అడుగునుంచే గనుక పైన ఎర్రబడదు. అందుకే పిండిని ముందే వేయించుకున్నది. ఓవెన్ ఉన్నవాళ్ళు 180 డిగ్రీల మీద నలభై నిమిషాలు కాల్చుకోవచ్చు.

ఇల్లంతా వాసన. మనవరాలు రెండుసార్లు పెట్టించుకుని, మూడోసారి గిన్నె అడుగే గీకింది. “ఇది పై కాదు గానీ అవ్వా, పై కంటే బాగుంది” అని తీర్పిచ్చింది.

సరిగ్గా ఆ సమయానికి మా వియ్యపురాలు దిగారు. గుంటూరువారు. నా చెయ్యి దానంతటదే గిన్నె మీద మూత వెతుక్కుంది. ఇన్నేళ్ళొచ్చినా జేజి భయం నాలో అట్లాగే ఉందన్నమాట. మూత పక్కన పెట్టేసి, ఒక ప్లేటులో వడ్డించి ఇచ్చాను.

“ఎంత కరకరలాడుతోందో! దేంతో చేశారు వదినగారూ?” అన్నారు ఆవిడ.

“జొన్నపిండితో” అన్నాను, కాస్త గట్టిగానే.

ఆవిడ ఇంకొంచెం వేయమన్నారు.

సాయంత్రం మనవరాలిని స్టూలెక్కించి అటక మీద వెతికించాను. పైన బూజే కాదు, జేజి బుట్ట కూడా ఉంది. తుడిచి, ఎండలో పెట్టి, వంటింట్లో గుమ్మానికి ఎదురుగా తగిలించాను. మా ఇంటికి ఎవరు వచ్చినా ముందు అదే కనబడుతుంది.