79వ పదాతి దళం (డ్రేపర్ రెజిమెంటు)

79వ పదాతి దళం 1757 నుండి 1763 వరకు ఉన్న ఒక బ్రిటిషు రెజిమెంటు. దీనిని నెలకొల్పిన విలియం డ్రేపర్ పేరు మీదుగా దీనికి డ్రేపర్ రెజిమెంటు అని కూడా పేరు. సప్తవర్ష సంగ్రామ కాలంలో ఇది మద్రాసు, వందవాసి, పాండిచ్చేరి, మనీలాలలో పోరాడినది. 1793లో ఏర్పడిన కామెరాన్ హైలాండర్ల దళానికి కూడా 79 సంఖ్యే లభించినది కాని, ఆ రెండింటికీ సంబంధం లేదు.

ఏర్పాటు

1757లో ఏర్పడినప్పుడు ఈ దళం సంఖ్య 64. మరుసటి సంవత్సరం అది 79గా మారినది. 1758లో ఈ దళాన్ని ఓడలలో మద్రాసుకు పంపారు. అప్పటికి దక్షిణ భారతంలో మూడవ కర్ణాటక యుద్ధం జరుగుచున్నది.

మద్రాసు ముట్టడి

1758 డిసెంబరులో ఫ్రెంచి సేనాని లాలీ మద్రాసు పట్టణంలో ప్రవేశించి, సెయింట్ జార్జి కోటను ముట్టడించాడు. డిసెంబరు 14న డ్రేపర్ కోట నుండి కొంత సైన్యంతో బయటకు వచ్చి, పట్టణంలోని ఫ్రెంచివారిపై దాడి చేశాడు. ఈ దాడిలో ఇరుపక్షాలకు నష్టం కలిగినది. ఫ్రెంచి అధికారి దెస్తాయ్ పట్టుబడ్డాడు. 1759 ఫిబ్రవరిలో బ్రిటిషు ఓడలు రావడంతో లాలీ ముట్టడి విరమించాడు. అనారోగ్యం వలన డ్రేపర్ ఇంగ్లండుకు మరలిపోయాడు.

వందవాసి, పాండిచ్చేరి

1760 జనవరి 22న వందవాసి వద్ద ఐర్ కూట్ నాయకత్వంలో ఈ దళం పోరాడినది. ఫ్రెంచివారి కందకంలో మందుగుండు పేలినప్పుడు ఆ స్థావరాన్ని పట్టుకొనే పని ఈ దళానికి అప్పగించారు. స్థావరం చేజిక్కినది కాని, దళాన్ని నడిపిన మేజర్ బ్రెరెటన్ అక్కడే నేలకొరిగాడు. బొబ్బిలి యుద్ధం ద్వారా తెలుగువారికి పరిచితుడైన బుస్సీ ఈ యుద్ధంలోనే ఆంగ్లేయులకు చిక్కాడు. 1761 జనవరిలో పాండిచ్చేరి లొంగిపోయినది. తరువాత 1774లో వారన్ హేస్టింగ్స్ కాలపు బెంగాల్ మండలిలో సభ్యుడైన జార్జి మాన్సన్ ఆనాడు ఈ దళంలో మేజరు.

మనీలా దండయాత్ర

1762 జనవరిలో బ్రిటన్ స్పెయిన్ పై యుద్ధం ప్రకటించినది. స్పెయిన్ ఏలుబడిలోని మనీలాను పట్టుకొనుటకు డ్రేపర్ మద్రాసుకు తిరిగివచ్చి, ఈ దళంతోను, కంపెనీ సిపాయిలతోను బయలుదేరాడు. సెప్టెంబరులో అచటికి చేరిన సైన్యం అక్టోబరు 6న నగరాన్ని జయించినది. కొల్లగొట్టకుండా విడిచిపెట్టుటకు 40 లక్షల డాలర్లు చెల్లించునట్లు ఒప్పందం కుదిరినది. ఇందులో సగానికి మాడ్రిడ్ ఖజానాపై హుండీలు వ్రాసి ఇచ్చారు.

రద్దు, తరువాతి వివాదం

మనీలా జయం వార్త ఐరోపాకు అందక ముందే, 1763 ఫిబ్రవరిలో పారిస్ సంధి జరిగినది. ఆ సంధిని అనుసరించి 1764లో నగరం తిరిగి స్పెయిన్ వశమైనది. హుండీలను చెల్లించుటకు స్పెయిన్ నిరాకరించినది. 1763లోనే దళం రద్దయినది. సైనికులకు రావలసిన సొమ్ములో అధికభాగం వారికి చేరనే లేదు. సొంత గౌరవాలు పొంది సైనికుల హక్కును డ్రేపర్ వదలివేశాడని 1769లో జూనియస్ అనే మారుపేరుగల రచయిత పత్రికాముఖంగా ఆరోపించగా, డ్రేపర్ ఖండించాడు.

స్మారకం

డ్రేపర్ బ్రిస్టల్ సమీపంలోని క్లిఫ్టన్ లో తాను కట్టుకొన్న ఇంటికి మనీలా పేరు పెట్టి, ఆ ఆవరణలో ఈ దళంలో మరణించినవారి స్మారకాన్ని నెలకొల్పాడు. తరువాత దానిని క్లిఫ్టన్ లోనే క్రైస్ట్ చర్చి సమీపానికి తరలించారు. ఒక రెజిమెంటు మృతులకై బ్రిటన్ లో వెలసిన తొలినాటి స్మారకాలలో ఇది ఒకటి.

ఇవి కూడా చూడండి

వందవాసి యుద్ధం
కర్ణాటక యుద్ధాలు
బొబ్బిలి యుద్ధం