వెన్నెలను మలచిన ఛాయాగ్రాహకుడు – మార్కస్ బార్‌ట్లీ

చలనచిత్రమును జూచి వచ్చినవారు నటీనటుల పేర్లను, పాటలను జ్ఞప్తియందుంచుకొందురు. ఆ బొమ్మలకు వెలుగునీడల నమర్చిన ఛాయాగ్రాహకుని పేరు పలుకువారు అరుదు. పుదూరు, కోవిల్‌పట్టి, విరుదునగరు ప్రాంతములందు తరతరములుగా స్థిరపడిన మన తెలుగు కుటుంబములవారు అట్టి ఒకని పేరు తప్పక తెలిసికొనవలెనని మా అభిప్రాయము. ఆయనయే మార్కస్ బార్‌ట్లీ.

బార్‌ట్లీ 1917లో జన్మించెను. ఆయన ఆంగ్లో-ఇండియను, తెలుగు ఆయనకు మాతృభాష గాదు. మొదట పత్రికలకు ఛాయాచిత్రములు తీసి, పిదప వార్తాచిత్రములకు పనిచేసి, అటుపై మద్రాసు చిత్రపరిశ్రమలో ప్రవేశించెను. బి.ఎన్. రెడ్డిగారి ‘స్వర్గసీమ’ (1945), కె.వి. రెడ్డిగారి ‘గుణసుందరి కథ’ (1949) ఆయన చిత్రీకరించినవే. విజయా సంస్థ వెలసిన పిమ్మట ‘షావుకారు’ (1950), ‘పాతాళభైరవి’ (1951), ‘మిస్సమ్మ’ (1955), ‘మాయాబజార్’ (1957), ‘గుండమ్మ కథ’ (1962) చిత్రములకును ఆయనయే ఛాయాగ్రాహకుడు.

ఆయన ప్రతిభకు ‘మాయాబజార్’ ఒక్కటి చాలు. అందలి వెన్నెల రాత్రి పడవ పాటను చూడుడు. నిజమైన వెన్నెల నాటి ఫిల్ముపై బొమ్మ కట్టుటకు చాలదు. కావున ఆ పాటను అధిక భాగము స్టూడియోలోనే తీసి, దీపముల వెలుతురునే వెన్నెలగా నమ్మించెను. తెలుపు నలుపులు తప్ప వేరు రంగు లేకున్నను, చూచువారికి రాత్రి చల్లదనము తోచును.

ఘటోత్కచుని విందులో లడ్డూలు తమంతట తామే యెగిరి నోటిలో పడును. అది కంప్యూటరు లేని కాలము. కెమెరాను నిలిపి, వస్తువును మార్చి, మరల త్రిప్పుట. ఒకే ఫిల్ముపై రెండు మారులు బొమ్మ పట్టుట – ఇట్టివే నాటి ఉపాయములు. కెమెరా వెంట్రుకవాసి కదలినను గుట్టు బయటపడును. ఎంత ఓర్పు వలయునో ఊహింపుడు!

మాయలయందే గాక సహజ దృశ్యములందును ఆయన దిట్ట. రాము కారియట్ తీసిన మలయాళ చిత్రము ‘చెమ్మీన్’ (1965)లో కడలిని, జాలరుల జీవితమును రంగులలో చూపెను. ఆ చిత్రమునకు రాష్ట్రపతి స్వర్ణపతకము లభించెను. తమిళ చిత్రము ‘శాంతి నిలయం’ (1969)నకు రంగుల ఛాయాగ్రహణమున జాతీయ పురస్కారము ఆయనకే దక్కెను. 1993లో దివంగతుడయ్యెను.

ఇక మనకు ముఖ్యమైన సంగతి. 1957లోనే ‘మాయాబజార్’ తెలుగు తమిళములు రెంట వెలువడెను. తెలుగున నాగేశ్వరరావుగారు, తమిళమున జెమినీ గణేశన్‌గారు అభిమన్యులు. సావిత్రి, రంగారావుగారలు రెంటను గలరు. మాటలు మారినను బార్‌ట్లీ వెలుగు మారలేదు. ఇంట తెలుగును, వీధిలో తమిళమును పలుకు మనకు ఇంతకంటె దగ్గరి చిత్రమేది?

మన బిడ్డలలో తెలుగు లిపి యెరుగనివారు పెక్కురు. తెలుగు ‘మాయాబజార్’కు 2010లో రంగులద్దిరి; అయినను పాత ప్రతినే వారికి చూపుడు. చదువలేని బిడ్డయు వినగలడు, చూడగలడు. తెలుగు తనది గాని వ్యక్తియే దానికి ఇంత వెలుగు నిచ్చెను గదా! తమది యైనవారు దానిని ఇంటిలోనైనను ఆరనీయరాదు.