సీతాపార్వతి: ఆవణి కొండ పెట్టిన పేరు

రెండు దేవతానామాలను కలిపి ఆడపిల్లకు ఒకే పేరుగా పెట్టే అలవాటు తెలుగువారికి కొత్తది కాదు. సీతామహాలక్ష్మి, గంగాభవాని వంటి పేర్లు ఇంటింటా వినిపించేవే. వాటి కూర్పును గమనిస్తే జతపడిన ఇద్దరు దేవతలూ చాలావరకు ఒకే కుటుంబానికి చెందినవారని తెలుస్తుంది: సీత లక్ష్మీదేవి అవతారం కనుక సీతామహాలక్ష్మి అనే పేరు వైష్ణవ పరిధిలోనే నిలుస్తుంది, గంగ, భవాని ఇద్దరూ శివునికి దేవేరులు కనుక గంగాభవాని శైవ పరిధిని దాటదు. సీతాపార్వతి అనే పేరు ఈ కట్టుబాటుకు వెలుపల ఉంది. రాముని ఇల్లాలూ శివుని ఇల్లాలూ ఒకే పేరులో కలిసి, ఒకే ఆడపిల్లకు పేరుగా నిలవడం అరుదైన సంగతి. ఈ కలయికకు ఒక కొండ, ఆ కొండ మీద ఒక గుడి, ఆ గుడి చుట్టూ వెయ్యేళ్లకు పైబడిన చరిత్ర ఆధారంగా ఉన్నాయి. అవి కర్ణాటకలోని కోలారు జిల్లా ముళబాగిలు తాలూకాలో, ఆవణి అనే గ్రామంలో ఉన్నాయి.

ముళబాగిలు ఆంధ్రప్రదేశ్‌లోని చిత్తూరు జిల్లా సరిహద్దుకు దగ్గరలో ఉన్న పట్టణం. మూడల బాగిలు అంటే తూర్పు వాకిలి అని, మైసూరు పీఠభూమి నుంచి తూర్పు దిక్కుగా దిగే దారికి ఇది ద్వారం కావడం వల్ల ఆ పేరు వచ్చిందని చెబుతారు. ప్రభుత్వ వ్యవహారం కన్నడంలో నడిచినా, ఈ తాలూకా పల్లెల్లో ఇంటి మాట, సంత మాట, పొలం మాట ఎక్కువగా తెలుగే. పట్టణానికి సుమారు 13 కిలోమీటర్ల దూరంలో ఉన్న ఆవణిలో కొండ కింద రామలింగేశ్వరాలయ సముదాయం, కొండ మీద సీతాపార్వతి గుడి ఉన్నాయి. రామేశ్వర, లక్ష్మణేశ్వర, భరతేశ్వర, శత్రుఘ్నేశ్వర లింగాలు ఒకే ప్రాకారంలో కొలువై ఉండటం కింది సముదాయం విశేషం. నలుగురు అన్నదమ్ములూ శివలింగాలకు పేర్లైన ఈ చోట, వారిలో పెద్దవాని భార్య పార్వతి పేరుతో కలిసి కొండ ఎక్కింది. కింది గుళ్లను చూడకుండా పై గుడి పేరును అర్థం చేసుకోవడం సాధ్యం కాదు.

ఇప్పుడు భారత పురావస్తు సర్వే రక్షణలో ఉన్న ఈ సముదాయంలోని ముఖ్య భాగాలు పదో శతాబ్ది నాటివని, నొళంబుల కాలంలో వెలిశాయని, తరువాత చోళుల కాలంలో కొన్ని చేర్పులు జరిగాయని చరిత్రకారులు నిర్ణయించారు. నొళంబులు పల్లవ వంశీయులమని చెప్పుకున్న పాలకులు. వారి రాజధాని హెంజేరు నేడు శ్రీ సత్యసాయి జిల్లాలో హేమావతి పేరుతో ఉంది. కనుక ఆవణి గుళ్లు తెలుగు, కన్నడ సీమలు రెండింటినీ ఏలిన ఒక రాజ్యపు నిర్మాణాలు. బి. ఎల్. రైస్ 1905లో ప్రకటించిన ఎపిగ్రాఫియా కర్ణాటికా పదో సంపుటంలో ముళబాగిలు తాలూకా శాసనాలు చేరడంతో ఈ చరిత్ర పండితులకు అందుబాటులోకి వచ్చింది. ఆ శాసనాల్లో ఊరి పేరు ఆవన్య అనే రూపంలో కనిపిస్తుంది. త్రిభువనకర్తర అనే శైవాచార్యుడు ఆవన్య స్థానాన్ని, అంటే ఇక్కడి మఠాన్నీ దానికి చెందిన ఆస్తులనూ, 40 ఏళ్లు ఏలాడని, 50 గుళ్లు కట్టించాడని, రెండు పెద్ద చెరువులు తవ్వించాడని ఒక శాసనం చెబుతుంది. దీన్నిబట్టి ఆవణి ఆనాడు పేరుమోసిన శైవ క్షేత్రమని స్పష్టమవుతుంది.

ఆ శాసనాల్లోనే ఈ నేలకు చెందిన ఒక పాత స్త్రీ సమాసనామం కూడా ఉంది. నొళంబ రాణి దీవబ్బరసి ఆవణిలో నొళంబనారాయణేశ్వరమనే గుడిని కట్టించి, తన పేరున దీవబ్బె సముద్రమనే చెరువును తవ్వించింది. పాత కన్నడంలో అబ్బె అంటే తల్లి, అరసి అంటే రాణి. ఈ రెండు మాటలూ దీవ అనే మూలపదానికి చేరి దీవబ్బరసి అయింది. అసలు పేరు ఒకటి, దానికి మాతృత్వాన్ని తెలిపే మాట ఒకటి, హోదాను తెలిపే మాట మరొకటి కలిసి ఆనాటి స్త్రీ నామం తయారైంది. తరువాతి కాలంలో అబ్బె స్థానాన్ని అమ్మ, అక్క అనే మాటలు ఆక్రమించాయి; కోలారు గ్రామదేవత కోలారమ్మ పేరు ఊరి పేరుకు అమ్మను చేర్చి కట్టినదే. దీవబ్బరసి కట్టించిన గుడి పేరు కూడా గమనించదగినది. నొళంబనారాయణ అనే రాజబిరుదులోని నారాయణ శబ్దం ఈశ్వర శబ్దంతో కలిసి శివుని పేరైంది. విష్ణు నామమూ శివ నామమూ ఒకే మాటగా కట్టే అలవాటు ఆవణిలో ఆ నాటికే రాతికెక్కిందని దీనివల్ల రుజువవుతుంది.

స్థలపురాణం ఈ శైవ క్షేత్రాన్ని రామాయణంలోకి తెచ్చింది. ఆ కథ ప్రకారం ఆవణి వాల్మీకి ఆశ్రమం ఉన్న చోటు. రాముడు విడిచిన సీత ఇక్కడే లవకుశులను కన్నది. కొడుకులు యాగాశ్వాన్ని కట్టివేయగా తండ్రితోనూ పినతండ్రులతోనూ యుద్ధం జరిగింది. తమ బిడ్డలతోనే పోరాడిన దోషం పోగొట్టుకోవడానికి అన్నదమ్ములు ఎవరి పేరున వారు లింగాలను ప్రతిష్ఠించారు. వాల్మీకి రామాయణంలో లవకుశులు రామకథను గానం చేస్తారే గాని తండ్రితో యుద్ధం చేయరు. ఆ యుద్ధ కథకు ప్రచారం తెచ్చినది జైమిని భారత సంప్రదాయం. ఆ గ్రంథాన్ని పదిహేనో శతాబ్దిలో పిల్లలమఱ్ఱి పినవీరభద్రుడు తెలుగులోకి తెచ్చి సాళువ నరసింహునికి అంకితమివ్వగా, కన్నడంలో లక్ష్మీశ కవి రచన పల్లెపల్లెకూ చేరింది. రెండు భాషలవారూ కలిసి బతికే ముళబాగిలు సీమలో ఈ కథ వేళ్లూనడం సహజమే. రావణవధ దోషం తీరడానికి రాముడు రామేశ్వరంలో లింగాన్ని నిలిపాడన్న ప్రసిద్ధ గాథ దీనికి నమూనాగా ఉండగా, ఆవణి కథ ఆ ప్రాయశ్చిత్తాన్ని యుద్ధభూమి నుంచి ఇంటిలోకి, తండ్రీకొడుకుల మధ్యకు తెచ్చింది. ఆ ఇంటికి కేంద్రం సీత.

సీత ఈ కొండ మీద పార్వతిని కొలిచిందని, ఆమె ప్రార్థనకు మెచ్చి పార్వతి ఆమెతోపాటు ఇక్కడే ఉండటానికి ఒప్పుకున్నదని భక్తుల విశ్వాసం. ఈ విశ్వాసాన్ని వ్యాకరణం దృష్టితో చూస్తే పేరులోని లోతు బోధపడుతుంది. రామేశ్వర శబ్దం గురించి పండితులు తరతరాలుగా చెప్పుకునే ఒక చర్చ ఉంది: రాముని ఈశ్వరుడు అని తత్పురుష సమాసంగా రాముడు విప్పగా, రాముడే ఈశ్వరుడుగా గలవాడు అని బహువ్రీహిగా శివుడు విప్పాడట, రాముడే ఈశ్వరుడు అని కర్మధారయంగా చెప్పి తక్కినవారు ఇద్దరికీ భేదం లేదని తేల్చారట. సీతాపార్వతి శబ్దాన్నీ ఇలాగే మూడు విధాల విప్పవచ్చు. సీత కొలిచిన పార్వతి అంటే తత్పురుష. ఇది స్థలపురాణం చెప్పే అర్థం. సీతయు పార్వతియు అంటే ద్వంద్వం. ఇద్దరు దేవతలూ కలిసి కొలువున్నారని చెప్పే అర్థం. సీతయే పార్వతి అంటే కర్మధారయం. ఇద్దరూ ఒకే తల్లి అని భావించే అర్థం. ద్వంద్వమైతే తెలుగులో సీతాపార్వతులు అని బహువచనం రావాలి, సీతారాములు, పార్వతీపరమేశ్వరులు అన్నట్టు. ఏకవచనంలో సీతాపార్వతి అని ఒక బిడ్డను పిలిచినప్పుడు ఆ పిలుపు తక్కిన రెండు అర్థాలనే నిలుపుతుంది: ఒకరు భక్తురాలు, ఒకరు దేవత కావచ్చు, లేదా ఇద్దరూ ఒక్కరే కావచ్చు.

రెండు పేర్ల మూలాలు ఈ కలయికను మరింత బలపరుస్తాయి. సీత అంటే నాగటి చాలు. రామాయణానికి ఎంతో ముందే ఋగ్వేదం నాలుగో మండలంలోని 57వ సూక్తంలో పొలాన్ని పండించే శక్తిగా సీత ప్రార్థన అందుకుంది. జనకుడు భూమిని దున్నినప్పుడు చాలులో దొరికిన బిడ్డకు ఆ పేరు రావడం ఆ పాత భావానికి కొనసాగింపే. పార్వతి అంటే పర్వతుని కూతురు. కేనోపనిషత్తులో ఇంద్రునికి బ్రహ్మతత్త్వాన్ని తెలియజెప్పిన ఉమను హైమవతి అనడంలో ఈ కొండబిడ్డ భావానికి ప్రాచీన రూపం కనిపిస్తుంది. ఒకరు నేల కూతురు, ఒకరు కొండ కూతురు. ఊరి పేరు ఆవణి అయినా భక్తుల చెవికి అది భూమి అనే అర్థమున్న అవని శబ్దంగానే వినబడుతుంది. నేల పేరును తలపించే ఊరిలో, కొండ శిఖరాన, నేల కూతురూ కొండ కూతురూ ఒకే పేరుతో నిలిచారు. కరువు సీమ అయిన కోలారు జిల్లాలో, వానకూ చెరువుకూ ఎదురుచూస్తూ మెట్ట పొలం దున్నుకునే రైతు కుటుంబానికి ఇంతకన్నా దగ్గరి దేవత మరొకరు ఉండరు.

మగవారి పేర్లలో ఇటువంటి కలయికకు ఘనమైన చరిత్ర ఉంది. విజయనగర స్థాపకుల్లో పెద్దవాడు హరిహరుడు. తిక్కన తన మహాభారతాన్ని హరిహరనాథునికి అంకితమిచ్చి శైవవైష్ణవ భేదాన్ని కావ్యం మొదట్లోనే తోసిపుచ్చాడు. సీతాపరిత్యాగ కథను నిర్వచనోత్తర రామాయణంగా తెలుగుకు ఇచ్చినవాడూ ఆయనే. ఆ తిక్కనకు ముళబాగిలుతో ఒక సాహిత్య బంధం ఉంది. మొదటి బుక్కరాయల కుమారుడైన కంపన పద్నాలుగో శతాబ్ది ద్వితీయార్ధంలో ముళబాగిలు కేంద్రంగా ముళవాయి రాజ్యాన్ని పాలించాడు. ఆయన భార్య గంగాదేవి భర్త మదుర విజయాన్ని మధురావిజయమనే సంస్కృత కావ్యంగా రాస్తూ, పూర్వకవులను స్తుతించే చోట తిక్కనను చేర్చింది. ఆ తరువాతి శతాబ్దిలో ద్వైత మతాచార్యుడు శ్రీపాదరాజులు పట్టణం పక్కనున్న నరసింహతీర్థంలో స్థిరపడ్డాడు. ఆవణిలో శృంగేరి శాఖకు చెందిన శంకర మఠం కూడా ఉంది. శివుని కొలిచేవారికీ విష్ణువును కొలిచేవారికీ ఒకే తాలూకాలో పీఠాలు ఏర్పడిన ఈ నేలలో హరిహర శబ్దానికి స్త్రీ రూపం పుట్టడం కాకతాళీయం కాదు. హరిహర అనే పేరు రాజుల చేతా కవుల చేతా శాసనాల్లోకీ కావ్యాల్లోకీ ఎక్కింది. సీతాపార్వతి అనే పేరును కొండ ఎక్కి వచ్చే ఆడవాళ్ల మొక్కులే నిలిపాయి.

ఆ మొక్కుల్లో ముఖ్యమైనది సంతానం కోసం చేసేది. సీత భర్త వదిలిన స్థితిలో అడవిలో ఇద్దరు బిడ్డలను కని పెంచిన తల్లి కాబట్టి, బిడ్డల కోసం తపించే ఆడవాళ్లు ఈ కొండను నమ్ముకున్నారు. మొక్కి కన్న బిడ్డకు ఆ క్షేత్ర దేవత పేరే పెట్టడం తెలుగువారి పాత ఆచారం; తిరుపతి మొక్కుతో వెంకటలక్ష్మి, విజయవాడ మొక్కుతో కనకదుర్గ, శ్రీశైలం మొక్కుతో భ్రమరాంబ పేర్లు వ్యాపించింది ఈ దారినే. బారసాల నాడు పళ్లెంలో పరిచిన బియ్యం మీద తండ్రి బిడ్డ పేరు రాయడం, ఆ పేరును బిడ్డ చెవిలో చెప్పడం ఆ మొక్కు చెల్లించడంలో భాగమే. తల్లి తల్లి పేరునూ తండ్రి తల్లి పేరునూ కలిపి మనుమరాలికి పెట్టే మరో ఆచారం కూడా ఉంది. ఒక అవ్వ సీతమ్మ, ఇంకో అవ్వ పార్వతమ్మ అయితే ఏ క్షేత్రంతోనూ సంబంధం లేకుండానే ఈ పేరు ఏర్పడగలదు. అప్పుడు కలిసేది రెండు ఇళ్లు. పెళ్లికి ముందు తెలుగు వధువు గౌరీపూజ చేయడం, తులసీదాసు రామచరితమానసంలో సీత స్వయంవరానికి ముందు గౌరిని పూజించడం గుర్తుంచుకుంటే, సీత పార్వతి భక్తురాలనే భావం ఆవణికి వెలుపల కూడా ప్రజలకు ఇష్టమైనదేనని తెలుస్తుంది.

సీతకు ప్రత్యేకంగా గుడి ఉన్న చోట్లు తక్కువ. కేరళలోని వయనాడు జిల్లా పుల్పళ్లిలో సీతను లవకుశులతో కలిపి పూజిస్తారు, అక్కడా వాల్మీకి ఆశ్రమ గాథ ఉంది. శ్రీలంకలోని నువర ఎలియ సమీపాన సీతమ్మ గుడి ఆమె బందీగా గడిపిన రోజులను తలపిస్తుంది. మొదటి చోట ఆమె తల్లిగా, రెండో చోట చెరలోని ఇల్లాలిగా పూజలందుకుంటుంది. ఆవణిలో ఆమెకు తోడుగా మరో స్త్రీ ఉంది. అయోధ్య విడిచిన ఆమెను పార్వతి చేరదీసిందన్నదే ఆవణి కథ ఇచ్చే ఓదార్పు. భర్త పేరుతో కలిసిన సీతారామమ్మ అనే పేరుకూ దేవత పేరుతో కలిసిన సీతాపార్వతి అనే పేరుకూ ఉన్న తేడా అక్కడ ఉంది.

ఇటువంటి పేరును రాసేటప్పుడు కొంత శ్రద్ధ అవసరం. సంస్కృత సమాసంలో సీతా శబ్దం దీర్ఘాంతంగా నిలుస్తుంది కనుక సీతాపార్వతి అని కలిపి రాయాలి. దరఖాస్తు గళ్లలో సీత ఒకచోట, పార్వతి మరోచోట పడితే సమాసం విడిపోయి, ఒకటి పేరుగానూ మరొకటి ఇంటిపేరుగానూ పొరబడే వీలుంది. రెండు అక్షరాల పేర్లు వాడుకలో పెరుగుతున్న కాలంలో ఈ పొడవైన పేరు సీతగానో పార్వతిగానో కుదించుకుపోవడం తేలిక. అలా కుదిస్తే పోయేది రెండు మూడు అక్షరాలు మాత్రమే కాదు. నొళంబుల శైవ స్థానం, జైమిని భారతపు లవకుశ కథ, శివకేశవ భేదం వద్దన్న తెలుగు కవుల మాట, బిడ్డ కోసం కొండెక్కిన తల్లుల మొక్కు, ఇవన్నీ ఒకచోట చేరిన ఆధారం ఈ పేరు. దీవబ్బరసి పేరు రాతి మీద నిలిచింది కాబట్టి వెయ్యేళ్ల తరువాత కూడా చరిత్రకు దొరికింది. సీతాపార్వతి పేరుకు అటువంటి భద్రత మనుషుల పిలుపులోనే ఉంది కనుక, ఆ పేరు పెట్టుకున్నవారూ దాన్ని నమోదు చేసేవారూ పూర్తిగా పలకడం, పూర్తిగా రాయడం ముళబాగిలు సీమ చరిత్రకు చేయగల సేవ.