ఆటల చోటు: నాపరాతి గీతల నుంచి ముంగిలి తెర దాకా

గుంటూరు బ్రాడీపేటలో ఇల్లు కనుక్కోవడానికి వీధి పేరుతో పనిలేదు, రెండంకెలు చాలు. నాలుగో లైను, ఏడో అడ్డరోడ్డు అన్నామంటే రిక్షావాడి దగ్గరనుంచి పోస్టుమాను దాకా అందరికీ తెలిసిపోతుంది. అరండల్‌పేటదీ ఇదే లెక్క. నిలువు గీతలు, అడ్డ గీతలు, వాటి నడుమ ఇళ్ళు. సెల్‌ఫోను తెర కూడా ఇటువంటి పేటే. నాలుగు నిలువు వరుసలు, నాలుగైదు అడ్డ వరుసలు, ఒక్కో గడిలో ఒక్కో బొమ్మ. ఏ గడిలో ఎవరు కాపురముండాలన్నది ఫోను సొంతదారు ఇష్టమని మనం అనుకుంటాం. ఈ పేటలో ఆటలకు ఇల్లు ఎప్పుడు దొరికింది, ఎవరిచ్చారు, ఊరి బయట ఉండవలసిన కొన్ని ఆటలు నడివీధిలోకి ఎలా వచ్చి కూర్చున్నాయి అన్నదే నేను చెప్పదలచుకున్న చరిత్ర.

ముందు మాటల సంగతి. హోంస్క్రీనును ‘ముంగిలి తెర’ అంటాను. ఇంటి ముందు ముగ్గు వేసే చోటు లాంటిదే కదా అది. షార్ట్‌కట్టును కొందరు ‘అడ్డదారి’ అని తెనిగించారు. తెలుగులో అడ్డదారికున్న పేరు అంత మంచిది కాదు కాబట్టి ‘దగ్గరిదారి’ అనడమే మర్యాద. అయితే కొన్ని ఆటల విషయంలో ఆ చెడ్డ పేరే తగినదేమోనని కూడా అనిపిస్తుంది. అది ముందు ముందు పాఠకులే చూస్తారు.

మన పల్లెల్లో ఆట అనేది మనిషి వెంట తిరిగేది కాదు. దానికొక చోటుండేది, మనిషే అక్కడికి వెళ్ళేవాడు. పల్నాడు నాపరాయికి పుట్టిల్లు. అమరావతి స్తూపానికి శిల్పాలు చెక్కింది కూడా పల్నాటి సున్నపురాతి మీదనే. అదే జాతి రాయి ఊళ్ళో రచ్చబండకు పరుపైంది, గుడి మంటపానికి నేల అయింది, ఇంటి అరుగైంది. ఆ రాతిమీద బొగ్గుతోనో సుద్దతోనో గీసి, మరీ ముచ్చటపడ్డవాళ్ళు ఉలితో చెక్కి, పులిజూదం ఆడుకునేవారు. కొండ ఆకారంలో గీతలు, 23 కూడళ్ళు, 3 పులులు, 15 మేకలు. మేకలకు గులకరాళ్ళు సరిపోయేవి. దాడి ఆటకూ అంతే. పక్కనున్న నాలుగు రాళ్ళు ఏరుకుంటే ఆట సిద్ధం, లేచిపోతే ఆట అక్కడే ఉంటుంది. దక్షిణాదిన చాలా పాత గుళ్ళ మంటపాల నేలమీద ఇప్పటికీ కనిపించే ఇటువంటి గీతలను యాత్రికులు యంత్రాలో చక్రాలో అనుకొని దణ్ణం పెట్టుకోవడం కద్దు. అవి ఆనాటి ముంగిలి తెర మీది ఆటల బొమ్మలే. ఒకసారి చెక్కితే చెరిగేవి కావు గనుక ఎక్కడ చెక్కాలన్నది ఊరంతటి విషయం: దేవుడి ఎదురుగా కాకుండా, దారికి అడ్డం రాకుండా, నీడపట్టున.

రాజుల కాలపు సంగతి చూసినా ఇంతే. క్రీస్తు శకం 3, 4 శతాబ్దాల్లో విజయపురి నుంచి ఏలిన ఇక్ష్వాకులు నాగార్జునకొండ లోయలో క్రీడారంగమే ప్రత్యేకంగా కట్టించారు. నాలుగు పక్కలా మెట్లు, నడుమ చదును నేల. 1954 నుంచి 1960 దాకా సాగిన తవ్వకాల్లో ఆ కట్టడాలు వెలికివచ్చాయి. సాగరు నీటిలో లోయ మునిగిపోతుందని కొన్నింటిని అనుపు దగ్గర తిరిగి నిలబెట్టారు; క్రీడారంగాన్ని ఇప్పుడు చూడగలిగేది అక్కడే. ఆటకు ఇంత ఘనమైన ఇల్లు కట్టినవాళ్ళు ఆ ఇంటిని ఊరందరి కళ్ళెదుట కట్టారన్నది గమనించాలి.

పల్నాటి కథలో బ్రహ్మనాయుడికీ నాగమ్మకూ మధ్య జరిగిన కోడిపందెం తెలియని తెలుగువాడు లేడు. ఓడినవాళ్ళు ఏడేళ్ళు ఊరు విడిచిపోవాలన్నది పందెం. రాజ్యాన్నే పందెంలో ఒడ్డిన ఆట కూడా బరిలో, జనం నడుమ జరిగింది. బాలచంద్రుడి బొంగరాలాటా వీధిలోనే. ఆ బొంగరం తగిలి ఒకరికి దెబ్బ తగలడమూ, ఆ మాటామాటా పెరగడమూ కథను యుద్ధం వైపు నడిపిస్తాయి. మన జిల్లావాడే అని మనం చెప్పుకునే వినుకొండ వల్లభరాయుడి పేర నిలిచిన ‘క్రీడాభిరామం’లో మంచనశర్మా టిట్టిభసెట్టీ ఓరుగల్లు వీధులవెంట తిరుగుతూ పొట్టేళ్ళ పోరూ కోళ్ళ పోరూ చూస్తారు. ఆ కావ్యం వల్లభరాయుడిదా శ్రీనాథుడిదా అన్న వాదం ఇక్కడ అనవసరం. ఆటలు చూడాలంటే వాళ్ళు నడిచి వెళ్ళవలసి వచ్చిందన్నదే నాకు కావలసిన ముక్క.

ఇంట్లో ఆడే ఆటలకు చోటుతోబాటు వేళ కూడా ఉండేది. వైకుంఠపాళి పటం చుట్టచుట్టి అటకమీదో భోషాణంలోనో ఉండి, ముక్కోటి ఏకాదశి జాగరణకో శివరాత్రికో కిందికి దిగేది. అష్టాచెమ్మా గళ్ళు అయిదూ అయిదూ ఇరవైఅయిదు. మధ్యాహ్నం పనులయ్యాక అరుగుమీద సుద్దతో గీసుకొని, సాయంత్రం కసవు ఊడ్చేటప్పుడు తుడిచేసేవారు. గవ్వలు గూట్లో, చింతపిక్కలు డబ్బాలో. వామనగుంటల పీట గోడకు ఆనించి ఉండేది. ఇలా ఎక్కడెక్కడో దాచి ఉంచడం క్రమశిక్షణ కోసమని ఎవరూ అనుకోలేదు, ఇంట్లో చోటు లేక అలా ఉంచారు. ఫలితం మాత్రం ఒకటే: ఆట మొదలుపెట్టడానికి నాలుగడుగులు వెయ్యాలి, ఇంకొక మనిషిని పిలవాలి.

కంప్యూటరు వచ్చినప్పుడు ఆటల చోటు గదిలోకి, ఆ గదిలోనూ ఒక మూలకు జరిగింది. 1990లో వచ్చిన విండోస్ 3.0లో ‘గేమ్స్’ అని ఒక పెట్టె విడిగా ఉండేది. అందులోనే సాలిటేర్ పేకాట. దాన్ని రాసినవాడు వెస్ చెర్రీ అనే కుర్రవాడు, అప్పటికి ఆ సంస్థలో శిక్షణకు వచ్చినవాడు. పేకముక్కల బొమ్మలు గీసింది సుసాన్ కేర్. తొలి మాకింటాషు బొమ్మలు గీసిన చెయ్యే అది. 1995 నాటికి ఆటలను ఇంకా లోపలికి నెట్టారు. స్టార్టు నొక్కి, ప్రోగ్రామ్సులోకి, అక్కణ్ణించి యాక్సెసరీసులోకి, అక్కణ్ణించి గేమ్సులోకి వెళ్ళాలి. నాలుగు గుమ్మాలు దాటితేగాని పేకముక్క కనపడదు. అయితే ఆ సంవత్సరమే దగ్గరిదారి అన్నది కూడా పుట్టింది: ఎడమ మూల చిన్న బాణంగుర్తు ఉన్న బొమ్మ. వస్తువు ఎక్కడో ఉంటుంది, దాని గుమ్మం మాత్రం నీ కళ్ళముందు ఉంటుంది. మన ఆఫీసుల్లో పెద్దాయనలు మౌసు పట్టడం సాలిటేరుతో నేర్చుకున్నారన్నది వేళాకోళం కాదు, చాలామంది విషయంలో నిజమే.

సెల్‌ఫోనులో తొలినాళ్ళ కాపురం పాముది. 1997లో నోకియా 6110లో టనేలీ అర్మాంటో పెట్టిన ‘స్నేక్’ అది. మన ఊళ్ళకు ఆ ఆటను తెచ్చింది 2003లో వచ్చిన నోకియా 1100. దుమ్ము పడ్డా, చెమట పట్టినా పాడుగాని ఆ ఫోను పొలంగట్టుమీద చెయ్యి జారినా భయముండేది కాదు. దానికి ముంగిలి తెర మీద బొమ్మల వరుసలు లేవు. మెనూలో ఒకటొకటిగా దాటుకుంటూ పోతే ఆటల గది వచ్చేది, అందులో ఉన్నవి వేళ్ళమీద లెక్కపెట్టేటన్ని. సర్దుకోవడం అన్న ప్రశ్నే లేదు.

ఆ ప్రశ్న 2008లో పుట్టింది. అంతకుముందేడు జూన్‌లో వచ్చిన తొలి ఐఫోనులో ఆట ఒక్కటీ లేదు. పెట్టిన పదహారు బొమ్మలూ పెట్టిన చోటే ఉండాలి. 2008 జనవరిలో వచ్చిన మార్పుతో బొమ్మమీద వేలు నొక్కి ఉంచితే బొమ్మలన్నీ వణకడం మొదలుపెట్టాయి, లాగి వేరే గడిలో పెట్టుకోవచ్చునన్నారు. జూలైలో ఆప్ స్టోరు తెరిచారు. సుమారు 500 సరుకులతో మొదలైన ఆ అంగడిలో ఆటలు మొదటినుంచీ ముందువరసలోనే కూర్చున్నాయి. పుటలకు పుటలు నిండిపోయాయి. చివరికి 2010లో బొమ్మమీద బొమ్మ వేస్తే రెండూ కలిసి సంచీ అయ్యే ఏర్పాటు తెచ్చారు. రెండు ఆటలను కలిపితే ఫోనే దానికి ‘గేమ్స్’ అని పేరు పెట్టేది. ఒక సంచీలో పన్నెండు పట్టేవి.

ఆండ్రాయిడు పద్ధతి వేరు. గుంటూరు జిల్లా చేతుల్లోకి వచ్చింది ఎక్కువగా ఇదే కాబట్టి దీని దగ్గర కాస్త ఆగాలి. ఇక్కడ సరుకంతా లోపలి గాదెలో ఉంటుంది, ముంగిలి తెరమీద ఉండేది ఉత్త దగ్గరిదారి. బొమ్మను తెరమీదనుంచి తీసేసినంత మాత్రాన ఆట పోదు. ఈ తేడా తెలియక, పిల్లవాడి ఫోనులో ఆటను ‘తీసేశాను’ అని నిశ్చింతగా పడుకున్న తల్లిదండ్రులు ఎందరో. ఆంగ్రీ బర్డ్స్, టెంపుల్ రన్, సబ్‌వే సర్ఫర్స్, కాండీ క్రష్ అన్నీ 2010-12 ప్రాంతాల్లో ఈ గడుల్లోకి వరసగా దిగినవే. 2011లో ఆండ్రాయిడు 4.0 వచ్చాక ఇక్కడా బొమ్మమీద బొమ్మ వేసి సంచీ కట్టడం సులువైంది.

అప్పటినుంచీ జనం ఆటలను ఎలా సర్దుకున్నారో చూస్తే మన పాత అలవాట్లే కనిపిస్తాయి. కొందరు సంచీ కట్టి మూడో పుటకు తోస్తారు; అది అటక. కొందరు బొటనవేలికి అందే కింది వరసలో పెడతారు, అది అరుగు. సంచీకి ‘ఆఫీసు’ అనో ‘బ్యాంకు’ అనో పేరు పెట్టి లోపల ఆటలు దాచే కుర్రవాళ్ళున్నారు; పాఠ్యపుస్తకంలో డిటెక్టివు నవల పెట్టి చదివిన తండ్రుల బిడ్డలే వాళ్ళు. 2016లో శాంసంగువాళ్ళు ఆటలన్నిటినీ తానే ఏరి ఒక చోట పెట్టే ‘గేమ్ లాంచర్’ తెచ్చారు. ఆటల పెట్టె మళ్ళీ విడిగా వచ్చింది, పాతికేళ్ళ కిందటి విండోసులో లాగానే.

అసలు కథ మారింది మరోచోట. చాలాకాలం పాటు ఆండ్రాయిడులో ఏ సరుకైనా, అనుమతి పట్టికలో ఒక వరస రాసుకుంటే చాలు, సొంతదారును అడగకుండానే ముంగిలి తెరమీద తన బొమ్మ తానే పాతుకోగలిగేది. మన వాకిట్లో మనకు చెప్పకుండా ఎవరో గుంజ పాతిపోయినట్టు. 2017లో వచ్చిన 8.0 దాన్ని ఆపింది. సొంతదారు ‘సరే’ అంటేనే బొమ్మ దిగాలన్నది కొత్త నియమం. ఈలోగా జనానికి అలవాటయిపోయింది. తెరమీద బొమ్మ ఉన్నదంటే తామే పెట్టుకున్నామని అనుకుంటారు.

2016 సెప్టెంబరులో జియో వచ్చాక డేటా చవకైంది. అదే సంవత్సరం ముంబయి పక్కనుంచి వచ్చిన లూడో కింగ్‌కు 2020 లాక్‌డౌనులో పట్టిన రాజయోగం అందరికీ తెలుసు. మన పచ్చీసునే ఇంగ్లండువాళ్ళు కుదించి 1896లో లూడో అని పేటెంటు తీసుకున్నారు. అది తిరిగి తిరిగి మన ముంగిట్లోకే వచ్చింది. దానితో పేచీ లేదు. పేచీ దాని పక్క గడిలో దిగిన డబ్బాటలతో. రమ్మీ, పోకరు వంటివి అప్పట్లో గూగుల్ అంగడిలో దొరికేవి కావు. సందేశంలో లంకె వస్తుంది, నొక్కితే నేరుగా ఫోనులోకి దిగుతుంది.

గుంటూరు మిర్చియార్డులో జనవరి నుంచి ఏప్రిల్ దాకా రద్దీ కాలం. టిక్కీలు దించుకొని, పాట అయ్యేదాకా, తూకం అయ్యేదాకా, చిట్టా చేతికొచ్చేదాకా రైతు అక్కడే కాచుకొని ఉండాలి. వెనుకటి రోజుల్లో ఆ నిరీక్షణలో తువ్వాలు పరిచి ముక్కలు వేసుకునేవారు. నలుగురు చుట్టూ నిలబడి చూసేవారు, తెలిసిన పెద్దమనిషి ఎవరైనా ‘ఇక చాల్లేరా అబ్బాయ్, లారీ వెళ్ళిపోతుంది’ అనేవాడు. ఫోనులో రమ్మీ ఆడేవాడి చుట్టూ ఎవరూ నిలబడరు. టిక్కీల డబ్బు ఖాతాలో పడేదీ ఆ ఫోనులోనే, ఒక గడి అవతల. డబ్బు వచ్చే గడికీ పోయే గడికీ మధ్య దూరం బొటనవేలు వెడల్పంత ఉన్న కాలం మనకు ముందెప్పుడూ లేదు.

చట్టం ఇది గ్రహించడానికి ఎందుకు ఆలస్యమైందో కూడా చోటు కథే చెబుతుంది. జూదాన్ని మన చట్టాలు మొదటినుంచీ ఒక ఇంటిగా ఊహించాయి: పేకాట గృహం, దాని నిర్వాహకుడు, అక్కడ దొరికినవాళ్ళు. సికిందరాబాదు క్లబ్బు కేసులో 1967లో సుప్రీంకోర్టు రమ్మీ ప్రధానంగా నైపుణ్యపు ఆట అని తేల్చినప్పుడు న్యాయమూర్తుల కళ్ళముందున్నది క్లబ్బు గది, అక్కడి రుసుము, అక్కడి బల్లలు. 1974 నాటి ఆంధ్రప్రదేశ్ జూద చట్టమూ ఆ ఊహమీదే నిలబడింది. ఇల్లే లేని జూదం వచ్చేసరికి దాన్ని సవరించవలసి వచ్చింది. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో ఆన్‌లైను ఆటలను చట్టంలోకి తెచ్చాయి. అయినా తాను పక్క రాష్ట్రంలో ఉన్నానని ఫోనును నమ్మించే ఉపాయాలు కుర్రవాళ్ళు వెంటనే కనిపెట్టారు. 2025 ఆగస్టులో పార్లమెంటు దేశం మొత్తానికి డబ్బాటలను నిషేధిస్తూ చట్టం చేసింది, 22న రాష్ట్రపతి సంతకమైంది. పెద్ద సంస్థలు ఆ వారంలోనే డబ్బు పోటీలు ఆపేశాయి.

ఆ తరువాత తెలిసినవాళ్ళ ఫోన్లు కొన్ని చూశాను. పోటీలు ఆగిన ఆటల బొమ్మలు చాలా తెరలమీద అలాగే ఉన్నాయి. నొక్కితే ఉచితంగా ఆడుకోమంటాయి, లేదా ఖాతాలో మిగిలిన సొమ్ము వెనక్కి తీసుకోమంటాయి. తీసెయ్యవచ్చు కదా అంటే, ఆ గడి ఖాళీ అయితే పక్కవన్నీ అటూ ఇటూ జరిగి వేలికి తడబాటవుతుందని ఒకాయన చెప్పాడు. గడి అలవాటైపోయింది, అందులో ఎవరున్నారన్నది తరువాతి సంగతి.