సహాయదర్శకుని చూపు: సింగీతం శ్రీనివాసరావు చిత్రములలో వస్తువు

సహాయదర్శకత్వమును దర్శకత్వసౌధపు వాకిట కొంతకాలము వేచియుండుటగా మాత్రమే గణించి, ఒకటిరెండు వాక్యములతో దానిని దాటిపోవుట మన చలనచిత్ర చరిత్రకారులకు పరిపాటి. సింగీతం శ్రీనివాసరావు విషయమున ఈ పద్ధతి పొసగదు. 1931లో ఉదయగిరియందు జన్మించి, మదరాసు ప్రెసిడెన్సీ కళాశాలలో చదివి, నాటకరచనాభినివేశముతో దర్శకులు కె. వి. రెడ్డిగారి శిష్యవర్గమున చేరిన ఈయన తొలి చిత్రమగు ‘నీతి నిజాయితీ’ 1972లో గాని వెలువడలేదు. పదునైదేండ్లకు పైబడిన ఆ శిక్షణమే ఆయన బహుముఖత్వమునకు మూలమని నా ప్రతిపాదన.

సహాయదర్శకుని నిత్యకృత్యము వస్తుజాలముతోడిది. క్లాపు కొట్టుట, కంటిన్యూటీ వ్రాసికొనుట, నిన్నటి షాటులో నటుని కుడిచేతనున్న పాత్ర నేడు ఎడమచేతికి మారకుండ కాచుట, ఇవి కీర్తి తెచ్చు పనులు కావు. అందును కె. వి. రెడ్డిగారు చిత్రీకరణకు పూర్వమే స్క్రిప్టును సంపూర్ణముగా స్థిరపరచి, సన్నివేశముల నిడివిని స్టాప్‌వాచితో కొలిచిన నియమపరులు. 1957 నాటి ‘మాయాబజార్’ నిర్మాణమున సింగీతం ఆ నియమమును సన్నిహితముగా చూచెను. ఆ చిత్రమున ప్రియదర్శిని పేటికను తెరచిన శశిరేఖకు అభిమన్యుడును, బలరామునకు దుర్యోధనుడును, కృష్ణునకు శకునియు గోచరింతురు. పుటలకొలది సంభాషణ చెప్పవలసిన అంతరంగము ఒక పెట్టెవలన క్షణములో బయటపడును. ఎక్కినవారిచే నిజము పలికించు సత్యపీఠము చేయు పనియు ఇట్టిదే. వస్తువు కథను నడపగలదను పాఠము శిష్యునకు అచ్చటనే లభించినదని నేను తలంతును.

ఆ పాఠము సంపూర్ణముగా ఫలించినది 1987 నాటి ‘పుష్పక విమానము’నందు. మాటలులేని చిత్రమనుట లోకప్రసిద్ధమే. మాట తొలగిన చోట ఏది నిలిచినదన్నది విచార్యము. సినిమాహాలు చెంతనున్న ఇరుకుగదిలో పోరాటదృశ్యముల రొదకు అలవాటుపడిన నిరుద్యోగి, విలాసవంతమగు హోటలు నిశ్శబ్దమున నిద్రపట్టక, ఆ రొదను టేపురికార్డరుపై పట్టి తెచ్చి, దానిని వినుచు హాయిగా నిదురించును. దారిద్ర్యము మనుష్యుని ఎంత లోతునకు చొచ్చునో చెప్పుటకు ఇంతకంటె క్లుప్తమగు మార్గము నాకు తోచదు. కిరాయి హంతకుడు మంచుగడ్డతో చేసిన బాకును పట్టుకొని తిరుగును. అది కరగిపోవునది గనుక అతని వృత్తినైపుణ్యమే అతనికి హాస్యాస్పదమగు శత్రువగుచున్నది. ఇట్టి దృశ్యములందు వస్తువు ఎప్పుడు కనబడవలెను, ఎంతసేపు నిలువవలెను అను లెక్క క్షణమాత్రము తప్పినను నవ్వు చెడును. కంటిన్యూటీ పుస్తకము వ్రాసిన చేయి గనుకనే ఆ లెక్క తప్పలేదు.

తక్కిన కృషిలో వైవిధ్యము విస్మయకరమే. పట్టాభిరామిరెడ్డి కన్నడమున తీసిన ‘సంస్కార’ నిర్మాణమున ఈయన సహకరించెను, పిమ్మట రాజాజీ రచన ఆధారముగా తమిళమున ‘దిక్కట్ర పార్వతి’ని తీసి జాతీయ పురస్కారము నందెను, రాజ్‌కుమార్‌తో ‘హాలు జేను’ వంటి కుటుంబకథను కన్నడిగులకు అందించెను, ‘భాగ్యద లక్ష్మీ బారమ్మ’కు తానే సంగీతమును కూర్చెను. ‘అపూర్వ సహోదరర్గళ్’లో కమలహాసను పొట్టివానిగా కనబడుట నేటి గణనయంత్రముల సాయము లేనినాటి ముచ్చట. 1991లో ‘ఆదిత్య 369’ కాలయంత్రముతో కృష్ణదేవరాయల కొలువునకును, భవిష్యత్తునకును ప్రేక్షకులను కొనిపోయెను. శాస్త్రకల్పనను జానపదకథాఫక్కిలో నడపిన ఆ చిత్రమున యంత్రము ప్రియదర్శినికి దాయాదివలె నాకు తోచును. మూడేండ్ల పిమ్మట వచ్చిన ‘భైరవద్వీపము’ ఆ జానపదధోరణినే సూటిగా స్వీకరించినది.

అయినను వస్తువుచే కథను నడపు ఈ పద్ధతికి ఒక హద్దు కలదు. ‘సన్ ఆఫ్ అల్లాద్దీన్’, 2008 నాటి ‘ఘటోత్కచ’ అను యానిమేషన్ చిత్రములందు ఉత్సాహమునకు కొరత లేదుగాని, ‘పుష్పక విమానము’నందలి బిగువు కానరాదు. బొమ్మల ప్రపంచమున ఏ వస్తువైనను తలచినంతనే మరొకటిగా మారవచ్చును. అచ్చట మంచుబాకు కరగవలసిన నిర్బంధమే లేదు. నిర్బంధమును ఎదిరించి గెలుచుటలో ఆరితేరిన దర్శకునకు అట్టి స్వేచ్ఛ అంతగా ఉపకరింపలేదని నా అభిప్రాయము.